ఉప్పు లేని చిలగడదుంప

ఆ రోజు ఆఖరి గుంపును లోయలోకి దింపేసరికి హుహానాకు కాళ్లకన్నా ముందు ఓపిక అరిగిపోయింది. జూలై అంటే ఆ దేశంలో నడి చలికాలం, చలి ఎముకలు కొరుకుతోంది. పైన బస్సు దిగినప్పుడు గజగజ వణికిన పర్యాటకులు సగం దారి నడిచేసరికి కోట్లు విప్పి చంకన పెట్టుకున్నారు. ఆ లోయ తీరే అంత, నేల కింద పొయ్యి ఆరదు. కాలిబాటకు రెండు పక్కలా బురద కుతకుతలాడుతుంది, రాళ్ల సందుల్లోంచి ఆవిరి బుసకొడుతుంది, కుళ్లిన గుడ్ల కంపు ముక్కుకు అలవాటయ్యేదాకా వదలదు. హుహానాకు అది పుట్టినప్పటి నుంచీ అలవాటే.

"ఇది మళ్లీ పేలుతుందా?" అని అడిగాడు ఎర్రటోపీ పెద్దాయన. రోజుకు ఒకరైనా అడుగుతారు.

"పేలితే ముందు మీకే చెప్తాను లెండి," అంది. అందరూ నవ్వారు.

పేలడం నిజమే. ఆమె ముత్తవ్వ తల్లి చిన్నపిల్లగా ఉన్నప్పుడు కొండ చీలి, సరస్సు ఒడ్డున ఉన్న ఊరు ఊరంతా బురద కింద పడిపోయింది. తర్వాత నీళ్లు పెరిగి ఆ బురదనూ మింగాయి. పోయినవాళ్లంతా హుహానా వంశం వాళ్లే. ఇప్పుడు పర్యాటకుల పడవ ఆ ఊరి మీదుగానే వెళ్తుంది. ఆ మాట ఆమె గుంపుకు ఎప్పుడూ రెండు ముక్కల్లో చెప్పి ఊరుకుంటుంది.

ఆ పూట ఆమె మనసు మాటల మీద లేదు. కొత్త మేనేజరు పొద్దున పిలిచి ఒక ఆర్డరు వేశాడు. పడవ సరస్సు మధ్యకు వెళ్లాక ఆమె గొంతెత్తి ఆ పాత పిలుపు పిలవాలట. జనానికి ఒళ్లు గగుర్పొడవాలట. తర్వాత్తర్వాత ఒడ్డున స్పీకరు కూడా పెట్టిస్తాడట, అటునుంచి బదులు వచ్చేట్టు.

పిలుపు అంటే పాట కాదు. వంశం వాళ్లు కూడే ఉమ్మడి ఇల్లు మరాయె, దానికి అతిథులు వస్తే, ఇంటి తరఫున ఒక ఆడమనిషి ముంగిట్లో నిలబడి పిలుస్తుంది. వచ్చినవాళ్లలోంచి ఇంకో ఆడమనిషి బదులు పలుకుతుంది. ఆ బదులు వినిపిస్తేనే వాళ్లు లోపలికి అడుగు వేస్తారు. పలికే ఆడగొంతు లేకపోతే ఎంతటి గుంపైనా గేటు బయట ఆగాల్సిందే. చివరికి అందరూ కూర్చుని కలిసి తింటారు. తిన్నాక ఇక వాళ్లు పరాయివాళ్లు కారు.

ముప్పై ఏళ్లు హుహానా వాళ్ల మరాయెలో పిలిచే గొంతు పిరిహిరా అత్తది. ఆవిడ హుహానాకు మేనత్త, పెంచిన తల్లి. పోయిన ఏడాది గొంతుకు ఆపరేషన్ అయ్యాక మాట పూర్తిగా పోయింది. ఇప్పుడు చెప్పాల్సిందేదైనా చిన్న నోటుపుస్తకంలో రాసి చూపిస్తుంది. ఆ చోటు హుహానాకు కావాలి. పదేళ్లు నేర్చుకుంది, కలలో కూడా సాధన చేసింది. అత్త మాత్రం ఇంకా సరే అని తల ఊపలేదు. ఒకసారి మరీ పట్టుపడితే ఇలా రాసింది: "నీకు గొంతుంది. ఆపుకోవడం రాదు."

ఆ మాట హుహానాకు ముల్లులా గుచ్చుకుని అలాగే ఉండిపోయింది. మేనేజరుకు కుదరదని చెప్పకపోవడానికి అదే కారణం. అత్తకు చెప్పకపోవడానికీ అదే కారణం.

రేవులో పడవ సిద్ధంగా ఉంది. నడిపేవాడు తీపెనే, ఆమె తమ్ముడు. ఇంకో రెండు నెలల్లో తండ్రి కాబోతున్నాడు, నోటికి మాత్రం ఇంకా తాళం పడలేదు. పెళ్లాం పురిటికి పుట్టింటికి వెళ్లడంతో అత్త ఇంట్లో మకాం వేసి మూడు పూటలా తింటున్నాడు.

"ఏంటక్కా, మొహం అలా పెట్టావ్? గొంతు ఆరిపోయిందా?"

"నువ్వు పడవ నడుపు చాలు."

"కెప్టెన్‌తో అలా మాట్లాడితే ఈదుకుంటూ వెళ్లాల్సొస్తది, ఆలోచించుకో."

పడవ కదిలింది. చలికాలం ఆ సరస్సు మీద ఆవిరి దుప్పటిలా పరుచుకుంటుంది. ఆ రోజు మరీ దట్టంగా ఉంది. మూడు కావస్తున్నా ఎండ జాడ లేదు, చుట్టూ తెల్లగా వెలుగు మాత్రం ఉంది. పొగలు కక్కే కొండ అంచు దగ్గర తీపెనే ఇంజను ఆపాడు. నీళ్లు పడవ అడుగును చిన్నగా తట్టాయి. ఎప్పుడూ ఆ మూల గుంపుగా ఉండే నల్ల హంసలు ఒక్కటీ లేవు.

అప్పుడు వాసన వచ్చింది. గంధకం కంపు కాదు. వేడి రాళ్ల మీద ఉడికిన పందిమాంసం, చిలగడదుంపలు... విందు వంట వాసన. ఆ ఒడ్డున ఇల్లు లేదు, పొయ్యి లేదు, మనిషి లేడు.

హుహానా ముందుకు వెళ్లి నిలబడింది. కళ్లు మూసుకుని ఊపిరి పీల్చింది.

పిలుపు వినిపించింది.

ఆమెది కాదు. ఆమె ఇంకా నోరు తెరవలేదు. ఆవిరి అవతలి నుంచి సన్నగా, పొడుగ్గా, ముసలి ఆడగొంతు... "రండి, నీళ్ల మీదుగా వచ్చినవాళ్లారా రండి. మీ పోయినవాళ్లను వెంటబెట్టుకుని రండి. మీ వాళ్లంతా ఇక్కడే ఉన్నారు."

స్పీకరు, అనుకుంది. అప్పుడే పెట్టించేశాడన్నమాట. ఒళ్లు మండింది. మన సరస్సు మీద మనల్నే అతిథుల్ని చేస్తాడా వీడు అనుకుంది. కానీ కోపం ఎంతసేపు? పదేళ్ల సాధన గొంతులో అప్పటికే లేచి నిలబడింది. పిలుపు వింటే బదులు పలకకుండా ఉండటం ఆమెకు చేతకాదు. పలికింది. ఇంత బాగా ఎప్పుడూ పలకలేదని ఆమెకే తెలుస్తోంది. పర్యాటకులు కొందరు కళ్లు తుడుచుకున్నారు.

ఆవిరి కొంచెం పక్కకు జరిగింది. ఎవరైనా దారి ఇస్తే జరిగినట్టు.

రేవుకు తిరిగి వచ్చాక గుంపు అక్కడికే వచ్చిన బస్సు ఎక్కి వెళ్లిపోయింది. హుహానా పడవలోకి తొంగి చూసేసరికి తీపెనే వెనక బల్ల మీద కూర్చుని ఏదో నములుతున్నాడు. ఒళ్లో పచ్చి నారతో అల్లిన చిన్న బుట్ట ఉంది. పెద్దకార్యాల్లో మనిషికొకటి చొప్పున పెట్టే పాతకాలం బుట్ట లాంటిది.

"బాగానే ఉడకబెట్టావుగానీ ఉప్పు మర్చిపోయావక్కా."

"నేనా? నేనేం పెట్టలేదు."

"మరి ఎవరు పెట్టారు? ఎర్రటోపీ తాతా?" నవ్వి, మిగిలిన సగం దుంప చొక్కా జేబులో వేసుకున్నాడు. "నీ వాటా ఉంచుతాలే, ఏడవకు."

ఎవరో పర్యాటకులు వదిలేసి ఉంటారని ఆమె సరిపెట్టుకుంది. దుంప నుంచి ఆవిరి లేస్తోందని చూసింది కూడా. చూసీ ఊరుకుంది.

తీపెనే పడవ కట్టేసి బండిలో వెళ్లిపోయాడు. దారిలో ఎవరూ మిగల్లేదని చూసుకుంటూ ఆఖరి గైడు నడిచే పైకి రావాలి. అది రోజూ చేసే పనే. సగం ఎక్కింది. బూట్ల అడుగు నుంచి నేల వేడి తగులుతోంది. బురద బుడగలు ఒకదాని వెనక ఒకటి పగులుతున్నాయి...

ఆగిపోయాయి. అన్నీ ఒకేసారి ఆగిపోయాయి.

వెనక నుంచి మళ్లీ అదే గొంతు. ఈసారి దగ్గరగా.

గొంతులో బదులు కదిలింది. హుహానా మఫ్లరు నోట్లో కుక్కుకుని నడిచింది. ఎందుకు కుక్కుకుందో ఆమెకు తెలియదు. స్పీకరుకు భయమేంటని తనను తాను తిట్టుకుంది. పరిగెత్తింది మాత్రం నిజం.

పైన ఆఫీసుకు తాళం వేస్తూ మేనేజరు కనిపించాడు. "ఆ స్పీకరు కట్టేయండి," అంది రొప్పుతూ.

"ఏ స్పీకరు? వైరే ఇంకా రాలేదు. సోమవారం చూద్దాం."

ఆమె బండెక్కి ఇంటి దారి పట్టింది.

ఇంటికి వచ్చేసరికి పిరిహిరా అత్త పంది ఎముకల పులుసు వడ్డిస్తోంది. తీపెనే కంచం ముందు కూర్చుని ఉన్నాడు. హుహానా దాచకుండా అంతా చెప్పింది. మధ్యలో ఏడ్చింది. అత్త కోప్పడలేదు. గరిటె కింద పెట్టి నోటుపుస్తకం తీసుకుంది.

"మీలో ఎవరైనా ఏమైనా తిన్నారా?"

హుహానా తమ్ముడి వైపు చూసింది. వాడి ముందు పులుసు అలాగే ఉంది. ఒక ముద్ద నోట్లో పెట్టుకుని బలవంతంగా మింగబోయి, చేతిలోకి ఉమ్మేశాడు. "బురదలా ఉందత్తా," అన్నాడు నెమ్మదిగా. జోకు వేయలేదు. జేబులోంచి సగం దుంప తీసి బల్ల మీద పెట్టాడు. రెండు గంటలు దాటింది. ఇంకా పొగలు కక్కుతోంది.

అత్త మళ్లీ పెన్ను పట్టింది. అక్షరాలు వంకర పోయాయి. "వాళ్లు పిలిచారు. నువ్వు పలికావు. వీడు తిన్నాడు. కింది లోకం తిండి తిన్నవాణ్ని వాళ్లు వదులుకోరు." పేజీ తిప్పి మళ్లీ రాసింది. "ఒక్క పలుకుతో మీరు వాళ్ల గేటు దాకా వెళ్లారు. ఇంకోసారి ఆడగొంతు పలికితేనే గేటు తెరుచుకుంటుంది. ఇంట్లో గొంతున్న ఆడదానివి నువ్వొక్కదానివే. ఆపుకో."

బయట వెలుతురు సన్నగిల్లుతుండగా మూడో పిలుపు వచ్చింది. సరస్సు అక్కడికి ఇరవై కిలోమీటర్లు. పెరటి కంచె అవతల నిలబడి పిలిచినట్టుంది.

తీపెనే లేచి బూట్లు తొడుక్కున్నాడు. ముడి శ్రద్ధగా వేశాడు.

"ఎక్కడికిరా?"

"ఎదురు చూస్తున్నారక్కా. వెళ్లకపోతే మర్యాదగా ఉండదు."

"నీకు బిడ్డ పుట్టబోతోందిరా... కూర్చో."

వాడు వినలేదు. పెరట్లోకి నడిచి, గేటు దగ్గర చేతులు కట్టుకుని నిలబడ్డాడు. గేటుకు గొళ్లెం లేదు. అయినా దాటలేదు. మళ్లీ పిలుపు... హుహానా గొంతు తనంతట తానే తెరుచుకోబోయింది. అత్త వెనక నుంచి వచ్చి రెండు చేతులతో ఆమె నోరు గట్టిగా మూసింది. ఇద్దరూ అలాగే నేల మీద కూలబడ్డారు. తన బతుకంతా ఏ గొంతు కోసం పాటుపడిందో ఆ గొంతు మీద హుహానాకు ఆ పూట అసహ్యం వేసింది.

చాలాసేపటికి పిలుపు ఆగింది. వాడు లోపలికి వచ్చి ఏమీ ఎరగనట్టు పడుకున్నాడు.

మర్నాడు ఆమె ఉద్యోగం మానేసింది. మరాయె పెద్దలకు కబురు పంపింది, ఆ చోటు తనకు వద్దని, ఇంకెప్పుడూ అడగనని. దుంపను అత్త ఆకులో చుట్టి తీసుకెళ్లి సరస్సులో వదిలి, చేతుల మీదా తల మీదా నీళ్లు చల్లుకుని వచ్చింది. వచ్చేసరికి అది బల్ల మీదే ఉంది, పొగలు కక్కుతూ.

ఐదు రోజులు గడిచాయి. రోజూ సందెవేళ పిలుపు వచ్చేది, రోజూ వాడు గేటు దగ్గర నిలబడేవాడు. హుహానా పళ్ల మధ్య గుడ్డ కరిచి పట్టుకుని కూర్చునేది. పగలు కూడా మాట్లాడటం తగ్గించేసింది. తీపెనే నీళ్లు తప్ప ఏదీ ముట్టలేదు, దవడలు పీక్కుపోయాయి. అయినా ఇంట్లోనే ఉన్నాడు. అదే చాలనుకుంది. ఆరో రోజు సందెకు పిలుపు రాలేదు. అత్త చాలా రోజుల తర్వాత ఆమె తల నిమిరి, పుస్తకంలో ఒక్క ముక్క రాసింది. "నేర్చుకున్నావు." హుహానా ఆ కాగితం చింపి దిండు కింద పెట్టుకుని పడుకుంది. వారం తర్వాత మొదటిసారి ఒళ్లు తెలియకుండా నిద్రపోయింది.

తెల్లారి లేచేసరికి వంటింట్లో తీపెనే కూర్చుని ఉన్నాడు. మొహం కళగా ఉంది. బల్ల మీద దుంప లేదు. బూట్ల నుంచి మోకాళ్ల దాకా బూడిదరంగు బురద, ఇంకా తడిగా. అత్త గోడ వైపు తిరిగి నిలబడింది. ఆవిడ భుజాలు కదులుతున్నాయి.

"నిన్న రాత్రి ఎంత బాగా పలికావక్కా," అన్నాడు తీపెనే ప్రేమగా. "గేటు దాటేశాం."

నేను కాదురా, అనబోయింది హుహానా. మాట పెగల్లేదు. రాత్రంతా గొంతెత్తి పలికినట్టు గొంతు బొంగురుపోయి, పచ్చిపుండులా మండుతోంది.