డబ్బా మీద పదహారు

శివకుమార్ చేసిన అవమానం అన్నం ముందు కూర్చున్నా మణిదీప్‌కు మింగుడు పడలేదు.

పొద్దున్నే జరిగింది అది. ఆదివారం కదా, యానాం దగ్గరి దరియాలతిప్పలో పిల్లలంతా వీధి అరుగు మీదే ఉన్నారు. మణిదీప్ తన ట్రాక్టర్ల వీడియో గేమ్ డబ్బా తెచ్చి అందరికీ చూపిస్తున్నాడు. శివకుమార్ దాన్ని లాక్కున్నాడు. డబ్బా మూల మీద వేలు పెట్టాడు.

"ఒరేయ్, ఇది చూడండ్రా! దీని మీద మూడు అని ఉంది. మూడేళ్ళ పిల్లల ఆటంట! మనోడింకా అంగన్‌వాడీలోనే ఉన్నాడ్రోయ్!"

అందరూ పడీ పడీ నవ్వారు. పక్కింటి సాయిలక్ష్మి కూడా నవ్వింది. దానికి ఆరేళ్ళు. ఎందుకు నవ్వుతున్నారో దానికి తెలియదు. అందరూ నవ్వారు కాబట్టి నవ్వింది. మణిదీప్‌కు అదే ఎక్కువ మండింది.

"నాకు పదకొండేళ్ళు. ఆరో క్లాసు," అన్నాడు.

"అయితే ఆరో క్లాసు ఆట ఆడరా. ఆయ్, మేం చూస్తాం!" అన్నాడు శివకుమార్.

ఆ ఆట, టీవీకి తగిలించి ఆట ఆడే పెట్టె, అన్నీ వీరవేణి అత్త ఇచ్చినవే. అత్త అంటే నాన్నకు అక్క. అత్త భర్తది ఫ్రెంచి పౌరసత్వం కార్డున్న కుటుంబం. ఇరవై ఏళ్ళ నుంచి వాళ్ళు ఫ్రాన్సులోనే ఉంటున్నారు. మే నెలలో యానాం వచ్చినప్పుడు, కొడుకు ఆడి వదిలేసిన పెట్టెనూ రెండు డిస్కులనూ సూట్‌కేసులో పడేసి తెచ్చింది. ఒకటి ట్రాక్టర్లది. రెండో దాని డబ్బా మీద నల్లటి సముద్రం ఉంది. నాన్న ఉమామహేశ్వరం ఆ రెండోదాన్ని ఒకసారి అటూ ఇటూ తిప్పి బీరువా మీద పెట్టేశాడు.

"ఇది తర్వాత చూద్దాం," అన్నాడు. ఎందుకో చెప్పలేదు. పెద్దవాళ్ళు చాలా సంగతులు అలాగే బీరువా మీద పెట్టేస్తారు.

మధ్యాహ్నం నాన్న యానాంలో తన ఫ్యాన్లు బాగుచేసే కొట్టుకు వెళ్ళాడు. అమ్మ పెరట్లో బట్టలు ఉతుకుతోంది. మణిదీప్ కుర్చీ వేసుకుని ఎక్కి ఆ డబ్బా దించాడు. ముందువైపు, మూలన, నారింజ రంగు చతురస్రంలో 16 అని ఉంది. వెనకవైపు చిన్న సాలెపురుగు బొమ్మ ఉంది.

ఎప్పటిలాగే సాయిలక్ష్మి వచ్చి పక్కన చాప మీద కూర్చుంది.

"అన్నయ్యా, ఆ అంకెందుకు?"

"పదహారేళ్ళు దాటినోళ్ళు ఆడాలని. కానీ అది ఫ్రాన్సోళ్ళకి. మనక్కాదు."

"మరి మనకెంత?"

మణిదీప్ తడుముకోలేదు. యానాం పిల్లలకు ఈ లెక్క ఎవరూ నేర్పక్కర్లేదు. యానాం పుదుచ్చేరి కిందికి వస్తుంది; వంతెన దాటి ఆంధ్రాలోని ఎదుర్లంక వెళ్తే పెట్రోలు రేటు మారిపోతుంది. బండి నంబరు మీద అక్షరాలు మారిపోతాయి. బడి సెలవులు కూడా అటొక రకం, ఇటొక రకం. ఒక నది దాటితేనే రూలు మారిపోతుంటే, అన్ని సముద్రాల అవతల వేసిన అంకె ఇక్కడెలా చెల్లుతుంది?

"మనకేం లేదు. ఇది యానాం," అన్నాడు ధీమాగా.

"ఇందులో సాలెపురుగులుంటాయా?"

"ఉంటే ఏంటి? నాకు భయమా?"

ఆట మొదలయ్యే ముందు పుట్టిన సంవత్సరం అడిగింది. మణిదీప్ తన నాన్న పుట్టిన సంవత్సరం కొట్టాడు. ఆట ఒప్పేసుకుంది.

సాలెపురుగులు ఒక్కటీ రాలేదు. నీళ్ళు వచ్చాయి. నల్లటి నీళ్ళ మీద ఒక పడవ, అందులో లాంతరు, వల విసురుతున్న ఒక మనిషి. చుట్టూ చప్పుడు లేదు. తర్వాత నీళ్ళలోంచి ఒక చెయ్యి లేచింది. పాలిపోయి, ఉబ్బిపోయి ఉంది. అది ఆ మనిషి మెడ పట్టుకుని లోపలికి లాగేసింది. లాంతరు ఆరిపోయింది. కాసేపటికి ఆ మనిషి మొహం నీళ్ళ మీదికి తేలింది. కళ్ళు తెరిచే ఉన్నాయి.

మణిదీప్ చటుక్కున పిల్లవైపు తిరిగాడు. "కళ్ళు మూసుకో," అన్నాడు. సాయిలక్ష్మి మూసుకుంది, కానీ వేళ్ళ సందుల్లోంచి చూస్తూనే ఉంది.

"మా నాన్న కూడా వల అలాగే ఇసురుతాడు," అంది మెల్లగా.

లేచి ఇంటికి వెళ్ళిపోయింది.

మర్నాడు తెల్లవారకముందే పక్కింట్లో ఏడుపు వినిపించింది. సాయిలక్ష్మి నాన్న లక్ష్మణరావు భుజాన వల వేసుకుని గుమ్మంలో నిలబడి ఉన్నాడు. పిల్ల అతని కాలు రెండు చేతులా చుట్టేసింది.

"ఎల్లద్దు నాన్నా! నీళ్ళల్లో చెయ్యుంది! లాగేస్తాది!"

"పీడకల వచ్చినట్టుంది," అంది వాళ్ళమ్మ. ఎలాగో విడిపించి లోపలికి తీసుకెళ్ళింది.

లక్ష్మణరావు పడవ తీశాడు. ఇరవై బారలు కూడా వెళ్ళలేదు. సాయిలక్ష్మి అమ్మ చెయ్యి విడిపించుకుని రేవులోకి పరిగెత్తి, పడవ వెనకే నీళ్ళలోకి దిగిపోయింది. నడుం లోతు, ఆపైన మెడ లోతు. వల బాగుచేసుకుంటున్న ఒక ముసలాయన దూకి జుట్టు పట్టి లాగాడు కాబట్టి సరిపోయింది.

ఆ రోజుతో లక్ష్మణరావు పడవ కట్టేశాడు.

అది ఆగస్టు. గోదావరికి ఎర్ర నీరు వచ్చేసింది. ఆ నీటికి ఎదురీదుతూ పులస చేప పైకి వచ్చేది ఆ నాలుగు వారాలే. ఆ నాలుగు వారాల సంపాదనతోనే వాళ్ళింట్లో అప్పులు తీరాలి, వలలు కొనాలి, పిల్లకు ఫీజు కట్టాలి.

"పడవ తియ్యట్లేదేంటి లక్ష్మణరావూ?" అని మణిదీప్ నాన్న అడిగాడు.

"ఎలా తియ్యమంటారండీ? నేను నీళ్ళలోకి దిగితే పిల్ల నా ఎనకాలే దిగిపోతాందండి. చేప కోసమని పిల్లని వదులుకోలేను కదండీ. ఏం చూసి జడుసుకుందో ఏంటో, చెప్పట్లేదండి."

మణిదీప్ గోడవైపు తిరిగి బూట్లు తుడుచుకున్నాడు. తుడిచిన బూటునే మళ్ళీ తుడిచాడు.

మంగళవారం పడవ కట్టే ఉంది. బుధవారమూ అంతే. గురువారం పక్కనే కట్టే శివకుమార్ వాళ్ళ పడవకు రెండు పులసలు పడ్డాయి. లక్ష్మణరావు రోజూ వల వేసే చోటే పడ్డాయట. రేవులో వేలం జరుగుతుంటే లక్ష్మణరావు దూరంగా నిలబడి చూశాడు. సాయిలక్ష్మి అతని వేలు వదల్లేదు.

శుక్రవారం కంప్యూటర్ క్లాసు అయ్యాక మణిదీప్ షారోన్ టీచర్ దగ్గర ఆగిపోయాడు.

"టీచర్, మా ఫ్రెండ్ ఒకడున్నాడు. వాడి దగ్గర ఫ్రాన్సు డిస్కుంది. దాని మీద పదహారు అని ఉంది. అది ఇండియాలో చెల్లదు కదా టీచర్?"

టీచర్ అతనివైపు ఒక్క క్షణం చూసింది. "ఆట పేరు తెలుసా ఆ ఫ్రెండ్‌కి?"

పేరు చెప్పగానే కంప్యూటర్‌లో వెతికింది. "చూడు. యూరప్‌లో పదహారు. అమెరికాలో అంకె వెయ్యలేదు, ఎమ్ అని అక్షరం వేశారు. అంటే పదిహేడు. జపాన్‌లో డి అని వేశారు, అదీ పదిహేడే. ఆస్ట్రేలియాలో పదిహేను."

"చూశారా టీచర్! ఒక్కొక్కళ్ళు ఒక్కోటి చెప్తున్నారు!" అన్నాడు మణిదీప్ సంబరంగా.

"అవును. ఒక దేశంలో నెత్తురంటే పట్టింపు ఎక్కువ, ఇంకో దేశంలో బూతులంటే ఎక్కువ. ఆట చూసి అంకె వేసే మనుషులు వేరు. సరే, ఇందులో అన్నిటికన్నా చిన్న అంకె ఏది?"

"పదిహేను."

"మీ ఫ్రెండ్‌కెన్నేళ్ళు?"

మణిదీప్ తెర మీది పదిహేనునే చూస్తూ నిలబడ్డాడు.

"ఇంకోటి. అంకెను చూసి ఆట తేలికో కష్టమో అనుకుంటారు చాలామంది. మూడు అని ఉన్న ఫుట్‌బాల్ ఆటలో మా తమ్ముడు ఇప్పటికీ ఓడిపోతుంటాడు. వాడు ఇంజనీరు! అంకె ఆట ఎంత కష్టమో చెప్పదు. చూసినోళ్ళ మనసులో ఏం మిగులుతుందో చెప్తుంది. వెనకాల బొమ్మలేమైనా ఉన్నాయా?"

"సాలెపురుగు, టీచర్."

"బాగా భయపెట్టే ఆట అని దానర్థం." టీచర్ కంప్యూటర్ కట్టేసింది. "దేశం మారితే అంకె మారింది నాన్నా. డిస్కులో బొమ్మ మారిందా? ఇంతకీ ఆ ఫ్రెండ్ ఒక్కడే చూశాడా, పక్కన ఎవరైనా ఉన్నారా?"

మణిదీప్ బ్యాగు తగిలించుకుని బయటికి వచ్చేశాడు. గేటు దాటేసరికి కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

ఇంటికి వెళ్ళలేదు. నేరుగా నాన్న కొట్టుకు వెళ్ళి అంతా చెప్పేశాడు. నాన్న పుట్టిన సంవత్సరం కొట్టిన సంగతి కూడా దాచలేదు. దెబ్బ పడుతుందనుకుని భుజాలు ముడుచుకున్నాడు.

దెబ్బ పడలేదు. ఉమామహేశ్వరం చేతిలోని స్క్రూడ్రైవర్ కింద పెట్టి, కొడుకును పక్కన స్టూలు మీద కూర్చోబెట్టాడు.

"నీ అంతప్పుడు నేనూ ఆడేవాణ్ణిరా. అప్పటికి వంతెన లేదు, పంటు మీద ఏరు దాటేవాళ్ళం. ఆ పంటు రేవు దగ్గర వెంకటేశ్వరరావు గారని ఒకాయనకి వీడియో గేమ్ కొట్టుండేది. అరగంటకి రెండు రూపాయలు. గోనెపట్టా మీద కూచునేవాళ్ళం. క్యాసెట్ పట్టకపోతే బయటికి తీసి ఉఫ్ఫని ఊది మళ్ళీ పెట్టేవాళ్ళం. ఆ గదిలో కిరసనాయిలు వాసనా, చేపల బుట్టల వాసనా వచ్చేది. ఇప్పటికీ ఆ వాసనొస్తే నా బొటనవేళ్ళు కదులుతాయి."

"ఆ క్యాసెట్ల మీద అంకెలుండేవా నాన్నా?"

"అంకెల్లేవు, ఏం లేవు. ఆయనే అంకె. మా నాన్న చనిపోయిన ఏడాది నేను దెయ్యాల ఆట అడిగాను. సమాధుల్లోంచి శవాలు లేస్తాయి అందులో. ఆయన క్యాసెట్ చేత్తో పట్టుకుని నా మొహంలోకి చూశాడు. 'ఇది పాడైపోయిందిరా అబ్బాయ్' అని చెప్పి మోటార్ సైకిళ్ళ ఆట పెట్టాడు. డబ్బులు కూడా తీసుకోలేదు. అది పాడవలేదని నాకు చాలా ఏళ్ళకి తెలిసింది."

ఆయన స్కూటర్ తాళం చేతిలోకి తీసుకున్నాడు.

"ఎవరింట్లో ఏం జరిగిందో ఆయనకి తెలుసు. ఏ పిల్లాడు ఏది చూడగలడో తెలుసు. ఆ కొట్టు లేదు, ఆయనా లేడు. ఇప్పుడు మనకి చెప్పేది డబ్బా మీది ఆ అంకె ఒక్కటే. నేను దాన్ని చూశాను గానీ నీకు చెప్పలేదు. నువ్వు చూసి కూడా లెక్క చెయ్యలేదు. పద."

ఇద్దరూ స్కూటర్ మీద దరియాలతిప్ప వచ్చారు. లక్ష్మణరావు గుమ్మంలో కూర్చుని వల చిక్కులు తీస్తున్నాడు.

"బాబాయ్," అన్నాడు మణిదీప్. "ఆ చెయ్యి సాయిలక్ష్మి కల్లో రాలేదు. నేనే చూపించాను. నా ఆటలో."

లక్ష్మణరావు తల ఎత్తలేదు. ఒక చిక్కు తీశాడు. ఇంకోటి తీశాడు. పక్కనే ఉన్న వాళ్ళావిడ, "అయిదు రోజుల్నించీ తెలిసే ఊరుకున్నావా మణీ?" అంది. ఆ ఒక్క మాటా దెబ్బకంటే గట్టిగా తగిలింది.

"పొద్దున్నే ఎన్నింటికి లేస్తావ్ రా?" అన్నాడు లక్ష్మణరావు చివరికి.

"ఏడింటికి బాబాయ్."

"రేపు నాలుగున్నరకి రా. నేను తిరిగొచ్చేదాకా దాని చెయ్యి వదలకూడదు."

మణిదీప్ నాలుగింటికే వెళ్ళాడు. రేవులో తాడు కట్టే దుంగ మీద సాయిలక్ష్మిని పక్కన కూర్చోబెట్టుకున్నాడు. పడవ కదలగానే పిల్ల వణికిపోయింది. అతని చేతిలో గోళ్ళు దిగాయి.

"ఆ చెయ్యి అబద్ధం," అన్నాడు. "కంప్యూటర్‌లో బొమ్మ గీసి కదిలించారు. గీసినోళ్ళ పేర్లు ఆట చివర్లో వస్తాయి. రాత్రి నాన్న ఫోన్‌లో షారోన్ టీచర్‌ని అడిగి రాసుకొచ్చాను. ఇదిగో, యాభై మంది పేర్లు."

"ఇంతమందా? ఒక్క చెయ్యికా?"

"ఆఁ."

"పనీ పాటా లేదా వాళ్ళకి?" అంది సాయిలక్ష్మి. కానీ నీళ్ళ మీంచి కళ్ళు తిప్పలేదు.

ఎనిమిదింటికి పడవ తిరిగొచ్చింది. ఆ రోజు పులస పడలేదు, గుప్పెడు చిన్న చేపలు పడ్డాయి. సాయిలక్ష్మి నాన్న చేతులు పట్టుకుని తిప్పి తిప్పి చూసింది. మర్నాడు మళ్ళీ కూర్చున్నారు. ఆ మర్నాడూ కూర్చున్నారు. బడికి ఆలస్యమై మణిదీప్ రెండుసార్లు గుమ్మం బయట నిలబడ్డాడు. తొమ్మిదో రోజు సాయిలక్ష్మి అతని చెయ్యి వదిలేసి, గవ్వలు ఏరుకోవడానికి వెళ్ళింది. పన్నెండో రోజు, "నువ్వు రానక్కర్లేదులే అన్నయ్యా, నీకు నిద్రొత్తాంది," అంది. అప్పటికి ఎర్ర నీరు తేటపడిపోయింది. ఆ ఏడాదికి పులస అయిపోయింది.

దీపావళి దగ్గర పడుతుండగా వీరవేణి అత్త ఫోన్ చేసింది.

"మణీ, మావాడు ఇంకో డిస్కు పక్కన పెట్టాడ్రా. తెలిసినోళ్ళు వస్తున్నారు, ఇచ్చి పంపనా?"

"అత్తా, ముందు డబ్బా మీద అంకెంతో చదువు."

"అంకేంట్రా?"

"మూలనుంటుంది. వెనకాల చిన్న చిన్న బొమ్మలుంటాయి, అవేంటో కూడా చెప్పు. పన్నెండు లోపయితేనే పంపు. లోపయినా సరే, సాయిలక్ష్మి పక్కన లేనప్పుడే పెడతాను. దానికి ఆరేళ్ళే."

"అబ్బో! విమానాశ్రయంలో కూడా ఇన్ని ప్రశ్నలు వెయ్యరు. ఊరికే వచ్చేదానికి ఇంత లెక్కేంట్రా?"

"పోయినసారిది ఊరికే రాలేదత్తా," అన్నాడు మణిదీప్. "ఆ గురువారం పక్క పడవకి పడిన రెండు పులసలూ లక్ష్మణరావు బాబాయ్ చోట్లోవే. వేలంలో ఎంత పలికాయో శివకుమార్‌ని అడిగి తెలుసుకున్నాను. ముప్పై ఒక్క వేల ఐదొందల రూపాయలు."