నాలుగో గీత ఎవరిది?

"మీ ముగ్గురూ కలిసి నా గెలుపు దోచుకున్నారు. ముందు ఆ మాట ఒప్పుకోండి. కుర్చీ తర్వాత చూపిద్దురుగాని."

ఆట కార్డుల షాపు తలుపు ఇంకా పూర్తిగా మూసుకోనే లేదు, ఆ మాట వచ్చి లోపల పడింది. అన్నది లిఫ్టులు బాగుచేసే అమ్మాయి. పని నుంచి నేరుగా వచ్చింది. చేతులకి గ్రీజు, భుజాన పనిముట్ల సంచి, జుట్టు నిండా వాన చినుకులు. గోడకి అంటించిన నోటీసు దగ్గరికి పోయి దాన్ని వేలితో పొడిచింది.

నోటీసులో ఉన్నవి రెండే వాక్యాలు. శనివారం ఆటలో ఆమె గెలుపు రద్దు. ఇకమీదట ఈ షాపు లీగులో 'ఒప్పందం' కార్డు నిషేధం.

కింద మూడు సంతకాలు. ఒకటి షాపు యజమానిది. అందరూ బాబాయ్ అంటారు. రెండోది ఆయన అల్లుడిది. మూడేళ్లుగా లీగు ఛాంపియన్ అతనే, ఊరందరికీ అల్లుడే. మూడోది జడ్జిది. జడ్జి అంటే పక్క వీధిలో అక్కతో కలిసి మందుల షాపు నడిపే కుర్రాడు. నలభై పేజీల నియమాలు నోటికొచ్చు కాబట్టి అతనికి రూల్‌బుక్ అనే పేరు స్థిరపడింది.

రూల్‌బుక్ ఎనిమిది శనివారాలుగా ఆమె ఆట చూస్తున్నాడు. ఆటనే చూస్తున్నానని తనకి తాను సర్దిచెప్పుకుంటున్నాడు.

"చూడమ్మాయ్, జడ్జి మాటే ఫైనల్," అన్నాడు బాబాయ్. "ఒప్పందం ఉండగా దాడి చేశావు. అది ఫౌల్."

"ఫౌలైతే గెలుపు కొట్టెయ్యండి. మధ్యలో కార్డేం చేసింది? మూడేళ్లు మీ అల్లుడుగారు ఇదే కార్డుతో గెలిస్తే స్ట్రాటజీ. నేను ఎనిమిది వారాలకి ఫైనల్ దాకా వచ్చేసరికి నిషేధమా?"

అల్లుడు కుర్చీలో వెనక్కి వాలాడు. "నేను వేస్తే అవతలివాడు ఆలోచించి ఒప్పుకుంటాడు సిస్టర్. నువ్వు నవ్వుతూ వేస్తే ఎవడైనా ఒప్పేసుకుంటాడు. అది ఫెయిర్ కాదు."

"అంటే శనివారం నా నవ్వు చూసి ఒప్పుకున్నారా? మామగారి ముందే చెబుతున్నారు. ధైర్యవంతులే!"

షాపులో నలుగురు కిసుక్కుమన్నారు. బాబాయ్ మాత్రం నవ్వలేదు. అల్లుడు కుర్చీలో నిటారుగా కూర్చున్నాడు.

ఆ కార్డు సంగతి కాస్త చెప్పాలి. ఈ ఆటకి బల్ల చుట్టూ నలుగురు కూర్చుంటారు. ఎవరి కట్ట వాళ్లది, ఎవరి సైన్యం వాళ్లది. ప్రాణాలు అయిపోయినవాడు లేచి పోతాడు, చివరికి మిగిలినవాడిది గెలుపు. 'ఒప్పందం' కార్డు తీసి ఒకరి ముందు పెట్టామంటే, అతను సరేనన్నాడంటే, మూడు రౌండ్ల పాటు ఆ ఇద్దరూ ఒకరినొకరు కొట్టకూడదు. అంతే కార్డు. దానితో ఏం చేస్తామన్నది వేసేవాళ్ల బుర్ర.

ఆమె చివరికి జడ్జి వైపు తిరిగింది. "లెక్క రాసింది తమరేగా జడ్జి గారూ?"

"నేనే. మూడో రౌండు పూర్తి కాకముందే మీరు కొట్టారు."

"పూర్తయింది. నేను లెక్కపెట్టుకునే కొట్టాను."

"నేను వంతుకో గీత చొప్పున కాగితం మీద రాసుకున్నానండీ."

"మా లిఫ్టుల్లోనూ ఆరుగురు మాత్రమే అని రాసుంటుంది. ఎంతమంది ఎక్కుతారో ఒకసారి వచ్చి చూడండి."

సంచి భుజం మార్చుకుని వెళ్లిపోయింది. రూల్‌బుక్ ఆ తలుపు వంకే చూస్తూ ఉండిపోయాడు. శనివారం మధ్యాహ్నం ఫైనల్. ఆ గెలుపు కొట్టేస్తే పట్టికలో ఆమె అయిదోది. కుర్చీలు నాలుగే.

రెండు రోజుల తర్వాత వాన దంచి కొడుతుంటే ఆమె మందుల షాపు మెట్లెక్కింది. ముంజేతి మీద కాలిన గాయం. లోపల ఎవరున్నారో చూసి వెనక్కి తిరగబోయింది. అంతలోకే అక్క చెయ్యి పట్టేసుకుంది.

"ఇంత కాలితే ఎక్కడికమ్మా పోతావు? కూర్చో. ఒరేయ్, ఆ ఆయింట్‌మెంట్ ఇలా ఇవ్వు."

రూల్‌బుక్ ఇచ్చాడు. ఇచ్చి అక్కడే నిలబడ్డాడు.

"బిల్లు వేస్తారా, దీనికీ ఏదైనా ఫౌల్ వేస్తారా?" అంది ఆమె.

"ఒకటి అడగొచ్చా?" అన్నాడు అతను. "ఒప్పందం అందరూ బలహీనుడితో చేసుకుంటారు. వాణ్ణి తర్వాత తీరిగ్గా చంపొచ్చని. మీరు ప్రతిసారీ అందరికన్నా బలవంతుడి ముందే ఎందుకు పెడతారు?"

ఆమె అతని మొహంలోకి చూసింది. ఎగతాళి కనపడలేదు. ఎనిమిది వారాల్లో ఆ ప్రశ్న అడిగిన మొదటి మనిషి ఇతనే. కౌంటర్ మీదున్న సీసాలు నాలుగు తీసి చతురస్రంగా పెట్టింది.

"ఇది మన శనివారం బల్ల. ఈ దగ్గు మందు నేను. ఇది పంపుల మెకానిక్. ఇది బేకరీ అన్న. ఈ టానిక్ సీసా అల్లుడు."

"పోలిక ఉంది," అంది అక్క. "బొద్దుగా, మూత తళతళా."

"బలవంతుణ్ణి ఒక్కరే కొట్టలేరు. ముగ్గురు కలిస్తే కొట్టొచ్చు. కానీ ముందు చెయ్యెత్తేది ఎవరు? ఎత్తినవాడి మీదే వాడు తిరగబడతాడు. అందుకని ముగ్గురూ పక్కవాడి మొహం చూస్తూ కూర్చుంటారు. నేను వాడితో ఒప్పందం పెట్టానా, వాడి సైన్యం ఇక ఆ ఇద్దరి మీదికే పోవాలి. ప్రాణం మీదికొస్తే ఆ ఇద్దరూ ఊరుకుంటారా? తిరిగి కొడతారు. మూడు రౌండ్లు తిరిగేసరికి వాడు సగం, నేను నిండు."

"మరి అల్లుడు ఎందుకు ఒప్పుకున్నట్టు?"

"నేనొక లెక్క కాదనుకుంటాడు కాబట్టి. ఈ అమ్మాయి భయపడి నా కాళ్ల దగ్గరికొచ్చింది అనుకుంటాడు. ఎందుకు వేస్తోందా అని ఒక్కడూ ఆలోచించలేదు. నవ్వు చూశారు, అంతే."

"నవ్వు నేనూ చూశాను," అన్నాడు రూల్‌బుక్, నోరు జారి.

"తమరు గీతలు చూసుంటే బాగుండేది."

అక్క దగ్గు రాకపోయినా దగ్గింది.

"సరే, శనివారం ఆట మళ్లీ ఆడదాం," అని అతను బిల్లు పుస్తకం తిరగేసి పెన్ను పట్టుకున్నాడు. "మీరు జరపండి. అప్పుడు రాసినట్టే రాస్తాను. ఒక్కో వంతుకి ఒక్కో గీత."

ఆమె దగ్గు మందు సీసా ముట్టుకుంది. ఒక గీత. మెకానిక్, ఇంకో గీత. బేకరీ అన్న, మూడో గీత. అల్లుడు కొట్టాడు, నాలుగో గీత. బేకరీ అన్న సీసా తీసి పక్కన పెట్టేసింది. "అన్న అవుట్. టీకి వెళ్లిపోయాడు."

"ఒక రౌండు," అన్నాడు అతను. నాలుగు గీతల చుట్టూ సున్నా చుట్టాడు.

ఆమె, మెకానిక్, అల్లుడు. మూడు గీతలు. మళ్లీ ఆమె. నాలుగో గీత. పెన్ను దానంతటదే సున్నా చుట్టేసింది. "రెండో రౌండు."

"ఆగు."

'తమరు' ఎగిరిపోయింది. ఆమె కౌంటర్ మీదికి వంగి ఆ కాగితాన్నే చూస్తోంది. "బల్ల దగ్గర ముగ్గురే ఉన్నారు. ఈ నాలుగో గీత ఎవరిది?"

అతను గీతల వంక చూశాడు. సీసాల మధ్య ఖాళీ వంక చూశాడు. మళ్లీ గీతల వంక చూశాడు. ముప్పై రెండో పేజీ, పై నుంచి మూడో నియమం: బల్ల దగ్గర మిగిలినవాళ్లంతా ఒక్కోసారి ఆడితే ఒక రౌండు. నిద్రలో లేపి అడిగినా చెప్పగలడు. చెయ్యి మాత్రం ఆరేళ్ల అలవాటుతో నాలుగేసి గీతలకి సున్నా చుట్టుకుంటూ పోయింది.

"నాలుగూ మూడూ మూడూ, పది వంతులు," అన్నాడు మెల్లగా. "పదితో ఒప్పందం అయిపోయింది. మీరు పదకొండో వంతులో కొట్టారు. నేను పన్నెండు కావాలని కూర్చున్నాను. తప్పు నాది."

ఆమె ఎగిరి గంతెయ్యలేదు. "తెలిసిందిగా. ఇప్పుడేం చేస్తావు?"

"బాబాయ్‌తో మెల్లగా మాట్లాడి..."

"మెల్లగానా? నోటీసు మెల్లగా అంటించారా? నన్ను అందరి ముందూ దొంగని చేసి, నీ తప్పు మాత్రం చెవిలో చెబుతావా?"

వానలోకి దిగి వెళ్లిపోయింది. ఆయింట్‌మెంట్ కౌంటర్ మీదే ఉండిపోయింది.

అక్క ఆ ట్యూబు తీసి తమ్ముడి చేతిలో పెట్టింది. "ఆరేళ్లుగా ఎవరి తప్పు వాళ్ల మొహానే చెప్పావు. నీది చెప్పడానికి చాటు కావాలిరా నీకు?"

అతను ట్యూబు జేబులో వేసుకున్నాడు.

శనివారం షాపు కిక్కిరిసిపోయింది. ఫైనల్ బల్ల దగ్గర అల్లుడు, బేకరీ అన్న, పంపుల మెకానిక్. నాలుగో కుర్చీలో కూర్చోబోతున్న కాలేజీ కుర్రాణ్ణి రూల్‌బుక్ ఆపాడు.

"ఇక్కడ కూర్చోవలసింది నువ్వు కాదు తమ్ముడూ. సారీ."

గుంపు వెనకాల గోడకి ఆనుకుని నిలబడ్డ లిఫ్టు అమ్మాయి తలెత్తింది.

"ఒరేయ్, ఏదైనా ఉంటే లోపల మాట్లాడుకుందాం రా," అన్నాడు బాబాయ్.

"లోపల వద్దు బాబాయ్. నోటీసు బయటే అంటించాం."

బల్ల మధ్యలో పోయిన శనివారం లెక్క కాగితం పెట్టి, అందరికీ వినపడేలా చెప్పాడు. గీతలు చూపించాడు. సున్నాలు చూపించాడు. "బేకరీ అన్న అవుటై పోయాక కూడా రౌండుకి నాలుగు వంతులు లెక్కేశాను. నియమం ప్రకారం మూడే. ఆమె ఫౌల్ చెయ్యలేదు. ఫౌల్ చేసింది నేను."

బేకరీ అన్న కళ్లు పెద్దవయ్యాయి. "నేను బయట టీ తాగుతుంటే ఇక్కడ నా వంతు ఎవడు ఆడాడ్రా?"

షాపంతా ఘొల్లుమంది. అల్లుడు బల్ల మీద చరిచాడు. "నవ్వకండి! వీడు ఆ అమ్మాయి వలలో పడ్డాడు. మొహం చూస్తే తెలియట్లేదా?"

రూల్‌బుక్ చెవులు ఎర్రబడ్డాయి. "పడ్డాను. ఎనిమిది శనివారాలైంది పడి. నేను పడి లెక్క తప్పి ఉంటే, బావా, ఆమె వైపు తప్పాలి కదా? నీ వైపు ఎందుకు తప్పుతాను?"

అల్లుడు కాగితం లాక్కుని గీతలు మళ్లీ లెక్కపెట్టాడు.

గుంపు దారి ఇచ్చింది. ఆమె నడిచి వచ్చి అతని ఎదురుగా నిలబడింది. "ఏమన్నావు?"

"లెక్క తప్పిందన్నాను."

"దాని తర్వాత."

"దానికి కాగితం లేదు. నోటితోనే చెప్పాలి."

"నా కోసం చేశావా ఇదంతా?"

"కాదు. నువ్వు నా మొహం చూడనన్నా ఇదే చెప్పేవాణ్ణి. తెలిసిన రోజే చెప్పాల్సింది. రెండు రోజులు భయపడ్డాను."

ఆమె పెదవి కొస కదిలింది. అది నవ్వో కాదో తేల్చుకోవడానికి షాపులో సగం మంది మెడలు సాచారు. "నీ సంగతి ఆట అయ్యాక చూస్తాను. అంతదాకా కదలకు. ముంజేతికి మందు కావాలి, తెచ్చావా?"

"జేబులో ఉంది."

బాబాయ్ చేతులు జోడించినంత పని చేశాడు. "సరే అమ్మాయ్. తప్పు జరిగింది. గెలుపు వెనక్కి ఇచ్చేస్తాం. కూర్చో, ఆడు. ఆ ఒక్క కార్డు మాత్రం వద్దు. నోటీసు మీద నా సంతకం ఉంది, నా పెద్దరికం కాస్త నిలబెట్టు."

"కార్డు తీసేసి నన్ను కూర్చోబెట్టి ఏం చేస్తారు? చేతులు కట్టేసి ఆడమంటారా?" ఆమె కుర్చీ లాక్కుని కూర్చుంది. కట్ట తీసి బల్ల మీద పెట్టింది. 'ఒప్పందం' కార్డులు నాలుగూ ఏరి, బొమ్మ పైకి కనపడేలా అందరి ముందూ పరిచింది. "ఇవి ఉంటే నేనుంటాను. నన్ను లేపాలంటే కుర్చీతో సహా లేపండి."

"ఒరేయ్, జడ్జివి నువ్వు. చెప్పు!" అరిచాడు బాబాయ్.

రూల్‌బుక్ మెడలోని జడ్జి కార్డు తీసి కౌంటర్ మీద పెట్టాడు. "చెబుతున్నా. ఆ నిషేధానికి కారణం ఫౌల్ అన్నాం. ఫౌలే లేదు. నేను సంతకం వెనక్కి తీసుకుంటున్నా. అది గోడ మీద ఉన్నంతసేపు ఈ షాపులో నేను జడ్జిని కాను." ఆమె కుర్చీ పక్కన పోయి నిలబడ్డాడు.

మెకానిక్ తన కట్ట కలపడం ఆపేశాడు. బేకరీ అన్న కట్టని బల్ల మీద బోర్లించి చేతులు కట్టుకున్నాడు. "అమ్మాయి లేకుండా నేనూ ఆడను. నాకు రాని వంతు నాకొద్దు."

అల్లుడు మామగారి వంక చూశాడు. మామగారు నేల వంక చూశాడు. వెనక నుంచి ఎవరో ఈల వేశారు.

లిఫ్టు అమ్మాయి లేవలేదు. గొంతు పెంచనూ లేదు.

"ముగ్గురు సంతకం పెట్టారు. ఒకడు అందరి ముందూ వెనక్కి తీసుకున్నాడు. మిగిలింది మీరిద్దరు. బాబాయ్, ఆ నోటీసు చింపండి. మీ చేత్తో చింపండి, వీళ్లందరూ చూస్తుండగా చింపండి. అల్లుడుగారూ, నా నవ్వు వల్ల ఓడిపోలేదని నోరు తెరిచి చెప్పండి. సాయంత్రం కాదు, ఆట అయ్యాక కాదు. ఇప్పుడే!"