మేలమాడే వరస

మధ్యాహ్నం మూడున్నరకి హాడీ ఫాయ్ పాత జైలు వెనక బ్లాకు దగ్గరికి వచ్చింది. ఆ రోజు ఆమెకున్న పని చాలా చిన్నది. లోపల పన్నెండు గదులున్నాయి. ప్రతి తలుపు ముందూ నిలబడి తన పేరూ విడుదల సంఘం పేరూ చెప్పి, లోపల ఎవరైనా ఉంటే పలకమని మూడుసార్లు అడగాలి. ఎవరూ పలక్కపోతే కాగితం మీద ఖాళీ అని రాసి సంతకం పెట్టాలి. మర్నాడు పొద్దున్నే బ్లాకుని కూలగొట్టి, ఆ జాగాలో వార్డర్లకి కొత్త చట్టాలు నేర్పే బడి కడతారు.

ఖాళీ గదుల ముందు నిలబడి ఎవరైనా ఉన్నారా అని అడగడం బయటివాళ్ళకి వింతగా ఉండొచ్చు గానీ, ఆ పద్ధతి పెట్టించింది హాడీయే. జనం పాతాయన అని పిలిచే మాజీ అధ్యక్షుడు ఇరవై ఏళ్ళ పైచిలుకు దేశాన్ని ఏలి, చివరికి ఒక రాత్రి విమానమెక్కి పోయాక జైళ్ళ రిజిస్టర్లు తిరగేస్తే సగం అబద్ధాలే. ఖాళీ అని రాసిపెట్టిన ఒక గదిలో ముగ్గురు మనుషులు బతికుండగా దొరికారు. ఏ కేసు కింద లోపలికొచ్చారో వాళ్ళకే గుర్తులేదు. అప్పట్నుంచి, అలాంటివాళ్ళని బయటికి తెచ్చే ఈ సంఘం రిజిస్టర్లని నమ్మడం మానేసి తలుపుల్ని అడగడం మొదలుపెట్టింది.

ఆమెకి సొంత కారణం కూడా ఉంది. పదకొండేళ్ళ కిందట అన్న మోదూని కాలేజీ గేటు దగ్గర జీపెక్కించారు. ఈ బ్లాకులోనే పెట్టారని తెలిసింది. ఆ తర్వాత ఇంకేమీ తెలియలేదు. బహిరంగ విచారణ ఎక్కడ జరిగినా అమ్మ వాడి ఫోటో ఒళ్ళో పెట్టుకుని ముందు వరసలో కూర్చునేది. కొత్త చట్టం రాస్తున్నప్పుడు హాడీ పట్టుబట్టి అందులో ఒక షరతు పెట్టించింది. క్షమాభిక్ష కావాలన్నవాడు చనిపోయినవాళ్ళ ఇంటివాళ్ళ ముందు నిలబడి నోరు విప్పాలి, చాటుగా చెబితే చెల్లదు అని. ఆ షరతు కోసం మంత్రులతో పోట్లాడింది లాయరు తిజాన్ గారు. ఆయన పాతాయన హయాంలో రెండుసార్లు జైలుకెళ్ళొచ్చిన మనిషి, హాడీకి అక్షరం అక్షరం పని నేర్పినవాడు. తండ్రి పోయాక ఆమెకి పెద్దదిక్కు ఆయనే. ఈ సంతకం నువ్వే పెట్టాలమ్మా, నీ అన్న పోయిన చోటు, నీ సంతకమైతే ఎవరూ వేలెత్తి చూపరు అని ఆయనే ఆమెని పంపాడు.

ముసలి వార్డరు సానా తాళాల గుత్తి పట్టుకుని ముందు నడిచాడు. ముప్ఫై ఏళ్ళుగా అక్కడే ఉన్నాడు. ప్రభుత్వం మారితే ఆయనకి మారింది చొక్కా రంగొక్కటే. బ్లాకుకి కిటికీలు లేవు. బయట వానాకాలపు ఉక్క, లోపల చెమ్మ. తడి సున్నం వాసన, మడ అడవి బురద వాసన, నది ఒడ్డున ఎవరో చేపలకి పొగపెడుతున్న వాసన అన్నీ కలిసి గొంతులో పట్టుకుంటున్నాయి. నడవా పొడుగునా ఒక్కటే బల్బు, అదీ జనరేటరు దయ మీద వెలుగుతోంది.

మొదటి గది. రెండోది. మూడోది. ప్రతి తలుపు ముందూ హాడీ తన పేరు చెప్పింది, అడిగింది, ఆగింది. ఆమె గొంతే నడవా చివరిదాకా పోయి తిరిగొచ్చేది. సానా తలుపు తీసి చూపించేవాడు. ఆమె ఖాళీ అని రాసేది. ఎనిమిదో గది మూస్తుండగా జనరేటరు రెండు దగ్గులు దగ్గి ఆగిపోయింది. పట్టపగలు అంత చీకటి ఉంటుందని ఆమె ఎప్పుడూ అనుకోలేదు. కదలకండి మేడమ్, లాంతరు తెస్తానని సానా తడుముకుంటూ వెళ్ళాడు. ఆయన చెప్పుల చప్పుడు కాసేపు వినిపించి తర్వాత వినిపించలేదు.

ఊరికే నిలబడడం ఇష్టంలేక, గోడ మీద చెయ్యి ఆన్చి ఆమె తొమ్మిదో గది దాకా నడిచింది.

"నేను హాడీ ఫాయ్‌ని. విడుదల సంఘం నుంచి వచ్చాను. లోపల ఎవరైనా ఉంటే పలకండి."

రెండోసారి అడిగింది. ఎక్కడో నీటి చుక్క పడింది. మూడోసారి అడిగేసరికి తలుపు వెనక ఎవరో గొంతు సవరించుకున్నారు.

"ఫాయ్ అంటే సెరేర్ పిల్లవేగా," అంది ఒక మగగొంతు, మెల్లగా. "మా బానిస కూతురికి ఎంత పెద్ద ఉద్యోగం వచ్చిందిరా."

హాడీకి భయం వేయలేదు. ఆ మాట అనేవాడు జోలా తప్ప ఇంకెవరూ కాదు. సెరేర్ తెగకీ జోలా తెగకీ తాతముత్తాతల నాటినుంచి మేలమాడే వరస. సంతలో, పెళ్ళిలో, ఆఖరికి చావింట్లో కూడా ఒకర్నొకరు బానిసా అని పిలుచుకుంటారు, తిండిపోతని తిట్టుకుంటారు. ఎవరూ కోపం తెచ్చుకోకూడదు. వరసవాడు అడిగింది కాదనకూడదు. అన్నిటికన్నా ముఖ్యం, ఒకరి రక్తం ఒకరు కళ్ళచూడకూడదు. ముక్కూమొహం తెలియని ఊళ్ళో కూడా ఈ వరస చెప్పుకుంటే తలుపులు తెరుచుకుంటాయి. కాబట్టి ఆమెకి ఒకటే తోచింది. మళ్ళీ ఒక మనిషిని రిజిస్టరు మింగేసింది, అంతే.

"ఎవరు బానిస? కుండెడు అన్నం తిని ఇంకా కావాలనేది మీ జోలాలే," అంది నవ్వుతూ. "నీ పేరు చెప్పు, రాసుకుంటాను. ఈ పూటే బయటికి తెస్తాను."

"అన్సుమానా జార్జు. నేనొక్కణ్నే కాదు. మేం పద్నాలుగు మందిమి."

ఇంత చిన్న గదిలో పద్నాలుగు మందా అనుకుంటూనే ఆమె చీకట్లో కాగితం వెనక్కి తిప్పింది. ఒక్కొక్క గొంతూ తలుపు దగ్గరికొచ్చి పేరు చెప్పింది. కొన్ని ముసలి గొంతులు, ఒకటి లేత గొంతు. పేరు చెప్పాక ప్రతివాడూ చిన్నగా నవ్వాడు. అక్షరాలు కనపడకుండానే ఆమె రాసుకుంటూ పోయింది. అన్నం పళ్ళెం తోసే సందు ఆమె మణికట్టు పక్కనే ఉంది. అంతమంది అంత దగ్గరగా నిలబడి మాట్లాడుతున్నారు... ఆ సందులోంచి ఊపిరి మాత్రం తగలడం లేదు.

"ఒకటడుగుతాను, కాదనకు," అంది మొదటి గొంతు.

"ఈ వరసలో కాదనే హక్కు నాకెక్కడిది? అడుగు."

"మా బానిసొకడు మమ్మల్ని భోజనానికి పిలిచాడమ్మా. వాడి ఇల్లెక్కడో తెలీదు. తెలిస్తే చెప్పు."

"సరే. మాటిచ్చాను. ఎవరు వాడు?"

"మోదూ ఫాయ్."

పెన్ను ఆగిపోయింది. మోదూ కూడా లోపలే ఉన్నాడా అని అడగబోయింది, ఈలోపే తలుపు వెనక గొంతు ఇంకా మెల్లగా, దాదాపు జాలిగా మాట్లాడింది. పేర్లు పిలిచి చంపడానికి తీసుకుపోయే రోజుల్లో మనుషులు తలుపులు పట్టుకుని వేలాడేవాళ్ళట. కేకలు విని మిగతా గదులు గోల చేసేవట. అందుకని అధికారులు ఒక ఉపాయం కనిపెట్టారట. తలుపు ముందు మోదూని నిలబెట్టేవాళ్ళట. ప్రాణం కోసం వాడు ఒప్పుకున్నాడట.

"ఏమనేవాడో తెలుసా? లేవరా బానిసా, నీ వాటా అన్నం చల్లారిపోతోంది, రా అనేవాడు. సెరేర్‌వాడు పిలుస్తుంటే జోలావాడికి అనుమానం ఎందుకొస్తుంది? నవ్వుకుంటూ, మా కాళ్ళతో మేమే నడిచి వెళ్ళాం. ఒక్కడూ ఏడవలేదమ్మా."

లాంతరు వెలుగు నడవాలోకి వచ్చింది. సానా ఆమె మొహం చూసి ఆగిపోయాడు. తలుపు తీయమంది. ఈ గది తాళంచెవి ఏడేళ్ళ కిందటే పోయిందన్నాడు. పగలగొట్టమంది. గొళ్ళెం ఊడి పడింది. లాంతరు ఎత్తి చూశారు. నాలుగు గోడలు... నేల మీద వేలు మందం దుమ్ము. దాని మీద ఒక్క అడుగు లేదు.

సానా ఏదో ప్రార్థన గొణిగాడు. హాడీ కాగితం తిప్పి చూసుకుంది. చీకట్లో రాసినా పద్నాలుగు పేర్లూ వరసగా, వంకర లేకుండా ఉన్నాయి.

సంతకం చేసిన కాగితం తీసుకుపోదామని తిజాన్ గారు కారు దిగి నడవాలోకే వచ్చాడు. ఆమె మాట్లాడకుండా కాగితం వెనక వైపు చూపించింది. ఆయన కళ్ళజోడు సర్దుకుని చదివాడు. మూడో పేరు దగ్గరికొచ్చేసరికి ఆగి, మళ్ళీ మొదటి పేరు నుంచి చదివాడు.

"ఇవి నీకెవరిచ్చారు? ఈ పేర్లున్న వాంగ్మూలం నా బీరువాలో తప్ప ఇంకెక్కడా లేదు."

"ఎవరి వాంగ్మూలం?"

ఆయన సానాని బయటికి పంపాడు. తర్వాత గోడకి ఆనుకుని, ముసలివాడిలా మాట్లాడాడు. మోదూ బతికే ఉన్నాడు. పాతాయన పోయిన ఏడే వచ్చి కాళ్ళ మీద పడ్డాడు. వాడి సాక్ష్యం లేకపోతే ఆ పని చేయించిన నలుగురు అధికారుల్లో ఒక్కడికీ శిక్ష పడేది కాదు. జనం ముందుకి తెస్తే ముక్కలు ముక్కలు చేసేవాళ్ళు. అందుకే తలుపులు మూసి వాంగ్మూలం తీసుకున్నారు, తలుపులు మూసే క్షమాభిక్ష ఇచ్చారు. వేరే పేరు, వేరే ఊరు, చిన్న కిరాణా కొట్టు.

"నేను రాసిన షరతు?" అంది హాడీ.

"అది మిగతావాళ్ళకి వర్తిస్తుందమ్మా. పెద్ద పని జరగాలంటే ఒక్కచోట కళ్ళు మూసుకోక తప్పదు. ఎక్కడున్నాడో చెబుతాను, వెళ్ళి చూసిరా. నది ఎగువన కుంటావూర్‌లో, పడవల రేవు ఎదురుగా నీలం తలుపు కొట్టు. ఆ సంతకం మాత్రం పెట్టు."

తను ఎందుకు పనికొచ్చిందో హాడీకి అప్పుడర్థమైంది. తప్పిపోయినవాడి చెల్లెలు సంతకం పెడితే, ఈ నేల కింద ఎవరున్నారని ఇంకెవరూ అడగరు. ఇన్నేళ్ళుగా ఆయన్ని నమ్మింది. ఆయన కోసం ఎంతమంది విధవల చేతులు పట్టుకుని ధైర్యం చెప్పిందో లెక్కలేదు. అక్కడే నిలబడి అమ్మకి ఫోన్ చేసింది. అన్న సంగతి నీకు తెలుసా అని అడిగింది.

"బతికున్నాడు కదే," అంది అమ్మ. "అది చాలదా?"

ఫోటో ఒళ్ళో పెట్టుకుని ముందు వరసలో కూర్చున్న అమ్మ. పక్కనే నిజంగా పోగొట్టుకున్న తల్లులు. హాడీ ఇంకేమీ అడగకుండా ఫోన్ పెట్టేసింది.

ఆమె సంతకం పెట్టలేదు. తొమ్మిదో గది ఎదురుగా పద్నాలుగు మంది అని రాసి కాగితం ఆయన చేతిలో పెట్టింది. ఆయన ఆ కాగితం నాలుగు మడతలు పెట్టి జేబులో వేసుకున్నాడు. సంచిలోంచి ఇంకో కాగితం తీసి సానాని కేకేశాడు. ముసలాయన లాంతరు కింద పెట్టి, చెప్పినచోట సంతకం పెట్టాడు. అంతా కలిపి రెండు నిమిషాలు పట్టలేదు. చట్టం దృష్టిలో ఆ పద్నాలుగు మంది కథ అక్కడితో అయిపోయింది.

వాళ్ళిద్దరూ వెళ్ళాక హాడీ తొమ్మిదో గది ముందుకి వెళ్ళింది. తలుపు తెరిచే ఉంది. లోపల ఎవరూ లేరని కళ్ళారా చూసింది. అయినా మాటిచ్చింది. పైగా ఆ క్షణాన అన్న మీద ఆమెకున్న అసహ్యం అంతా ఇంతా కాదు.

"కుంటావూర్," అంది చీకట్లోకి. "పడవల రేవు ఎదురుగా... నీలం తలుపు."

గదిలో గాలి కదిలింది... ఆమెని ఒరుసుకుంటూ... ఒకటి తర్వాత ఒకటి... నడవాలోంచి బయటికి పోయింది.

గేటు బయటికొచ్చేసరికి ఇంకా వెలుతురుంది. చెయ్యి కడుక్కోవాలనిపించింది ఎందుకో. తను చేసిందేమిటో నెమ్మదిగా తలకెక్కుతోంది. వాడు ద్రోహి, నిజమే. జ్వరమొస్తే తనని వీపున మోసి ఆసుపత్రికి తీసుకెళ్ళినవాడు కూడా. అమ్మనడిగి నంబరు తీసుకుందామని ఫోన్ తీసింది. అది చేతిలోనే మోగింది. తెలియని నంబరు. కుంటావూర్ అక్కడికి కారులో ఐదు గంటల దూరం. ఆ ఊరి పేరు ఆమె పలికి పావుగంట కూడా కాలేదు.

"హాడీ, నేనే. మోదూని." పదకొండేళ్ళ తర్వాత విన్న ఆ గొంతులో భయమేమీ లేదు. సంతోషంతో వణుకుతోంది. "నువ్వు నన్ను క్షమించేశావటగా. వీళ్ళు చెప్పారు."

"ఎవరు... ఎవరు చెప్పారు?"

"మన జోలావాళ్ళే. కొట్టునిండా జనం. అబ్బ, ఏం మేలమాడుతున్నారే, కడుపు చెక్కలయ్యేలా నవ్వించారు. టీ పోశాను గానీ ఎవడూ ముట్టుకోడు. భోజనానికి పోదాం రమ్మంటున్నారు, లేస్తున్నా."

"అన్నయ్యా, వెళ్ళకు. తలుపు వేసుకో. నా మాట విను."

వెనక మగవాళ్ళ నవ్వులు దగ్గరయ్యాయి. వాటి మధ్య ఒక ఆడగొంతు కూడా నవ్వుతోంది.

"పద్నాలుగు మంది మగాళ్ళు, ఒకామె," అన్నాడు మోదూ. "ఆమె తలుపు దగ్గరే నిలబడింది, మొహం కనపడనివ్వదు. నన్ను పేరుపెట్టి పిలుస్తోంది. అదేంటే... అచ్చం నీ గొంతే."