లిఫ్టు కదిలినా పచ్చగానే

ముందుగా క్షమించమని అడగాలి. నేను అక్షరాలు దిద్దింది మా ఆయన పోయాక, అరవై దాటాక. ఒత్తులూ దీర్ఘాలూ అక్కడక్కడా తప్పుతాయి, చెయ్యి కూడా నెమ్మది. ఈ కథలో రైలు మాత్రం నాకోసం ఆగదు. అందుకని సూటిగా హత్య దగ్గరే మొదలుపెడుతున్నాను.

గొడుగులు బాగుచేసేవాడు పట్టపగలు, చుక్క వాన లేని రోజున, తెరిచిన గొడుగు పట్టుకునే రోడ్డు మీద కూలిపోయాడు. మెడ మీద దోమ కుట్టినంత గాటు. అంతే. గొడుగు పిడిలో చుట్టిపెట్టిన కాగితం గంట తిరక్కుండా పెద్దాయన బల్ల మీదికి చేరింది.

పెద్దాయన రహస్య విభాగానికి చీఫ్, గొడుగులవాడు ఆయనకి కబుర్లు మోసేవాడు. ఆయన ఎదుట కూర్చున్నది ఏజెంట్ చీమ. నలభై మూడేళ్ల మనిషి. ఎక్కడున్నా ఎవరి కంటా పడదు, కుట్టాకే తెలుస్తుంది. అందుకే ఆ పేరు.

"చదువు," అన్నాడు పెద్దాయన.

చీమ చదివింది. 'రైల్వే కంట్రోల్ రూమ్. లైబ్రరీ ఫైలు మారుస్తారు. లైను తెగినా పచ్చగానే ఉంటుంది.'

"కంట్రోల్ రూములో లైబ్రరీ ఎందుకు సార్? రైళ్లు నడుపుతారా, నవలలు చదువుతారా?"

పెద్దాయన నవ్వలేదు. గోడకానుకుని నిలబడ్డ మరమ్మతు మామయ్య నవ్వాడు. విభాగానికి కావలసిన పరికరాలన్నీ చేసిపెట్టేది ఆయనే.

"పుస్తకాలది కాదమ్మా. కంప్యూటర్లో ప్రోగ్రాములు ప్రతి పనీ సొంతంగా చేసుకోవు. ఒకే కాంపౌండులో నాలుగు వాటాలుంటే నిచ్చెన ఒక్కటే ఉంటుందే, కావలసినవాళ్లు తెచ్చుకుని వాడుకుంటారే, అట్లా కొన్ని ఫైళ్లుంటాయి. వాటినే లైబ్రరీలంటారు."

"మరి ఈ ఫైలు పనేంటి?"

"నెట్‌వర్క్ బతికుందో లేదో చూడ్డం. సొరంగానికి అవతల స్టేషన్లో సిగ్నల్ యంత్రముంది. దాన్ని మూడు సెకన్లకోసారి 'ఉన్నావా?' అని అడుగుతుంది. 'ఉన్నా' అంటే పచ్చ దీపం. జవాబు తడబడితే పసుపు. అసలు రాకపోతే ఎరుపు. ఎరుపు పడిందా, ఎక్కడి రైలు అక్కడ ఆపెయ్యాలి."

"స్నానాల గదిలో ఆలస్యమైతే మా అక్క తలుపు కొడుతుంది. అదన్నమాట."

"అచ్చం అదే. బూడిద ముఠా తెచ్చే దొంగ ఫైలు తలుపు కొట్టదు. లోపల మనిషి పోయినా సరే, 'ఉన్నా, ఉన్నా' అని తనే గొంతు మార్చి చెబుతుంది. పేరు అదే, సైజు అదే, తారీఖు అదే. చూసి పట్టుకోలేం."

బూడిద ముఠా విదేశీ గూఢచారుల గుంపు. వాళ్ల మొహాలు చూసినవాళ్లెవరూ చెప్పడానికి మిగల్లేదు.

పెద్దాయన ముందుకు వంగాడు. "ముఠాలో మన మనిషి ఒకతె ఉంది. పేరు నీలం. సాఫ్ట్‌వేర్ ఆడిటర్‌గా అక్కడికి వస్తోంది. నీ కోడ్ 'ఫినాయిల్ అయిపోయింది.' తన జవాబు 'నిమ్మ వాసనది తెప్పించండి.' తను చెప్పేదాకా నువ్వు కదలకూడదు."

మామయ్య ఒక తలపిన్ను అందించాడు. "దీన్ని విరిస్తే లోపల యూఎస్‌బీ. అసలు ఫైలు అందులో ఉంది. కంప్యూటర్‌కి గుచ్చితే చాలు, దొంగది పోయి ఇది కూర్చుంటుంది."

మర్నాటి నుంచి చీమ చేతిలో తుడుపు కర్ర, బకెట్టు.

కంట్రోల్ రూము నాలుగో అంతస్తులో ఉంది. గోడ నిండా పెద్ద తెర, దాని మీద పట్టాల గీతలు. రెండు స్టేషన్ల మధ్య కొండ, కొండలో సొరంగం, సొరంగంలో ఒకటే పట్టా. ఆ గీత పక్కనే పచ్చ దీపం. గోడకి ఒక ఎర్ర పిడి. తెర ముందు బట్టతల కంట్రోలర్, అటూ ఇటూ ఇద్దరు అసిస్టెంట్లు. చీమ వాళ్ల కాళ్ల కింద తుడిచేది. వాళ్లు కాళ్లెత్తేవాళ్లు తప్ప తలలెత్తేవాళ్లు కాదు.

ఆ గదిలో ఒక అలవాటుంది. నెట్‌వర్క్ వైరు లిఫ్టు గొట్టం పక్కగా వేశారు. ఎప్పుడో, ఎవరో, పని తొందరగా కానిచ్చేద్దామని. లిఫ్టు కదిలిన ప్రతిసారీ జవాబులు ఒకటి రెండు తడబడి దీపం పసుపెక్కేది. కంట్రోలర్ తల ఎత్తకుండానే "లిఫ్టు" అనేవాడు. మళ్లీ పచ్చ. రోజుకి నలభైసార్లు. దగ్గినట్టు, ఆవలించినట్టు, "లిఫ్టు."

పదకొండు రోజులు అలా గడిచాయి. పన్నెండో రోజు పొద్దున్నే బావ ఫోన్ చేశాడు. అక్క మొగుడు, ముప్ఫై ఏళ్లుగా ఇంజిన్ డ్రైవరు.

"ఏం మరదలా, మీ ఇన్సూరెన్స్ ఆఫీసుకి సెలవుల్లేవా? మీ అక్క నా బుర్ర తింటోంది, చెల్లెల్ని చూడాలని." ఇంట్లోవాళ్లకి తెలిసినంతవరకు చీమ చేసేది ఇన్సూరెన్స్ ఉద్యోగం.

"ఆదివారం వస్తా బావా. ఇవాళ నీ డ్యూటీ ఎటు?"

"సాయంత్రం నాలుగున్నర ప్యాసింజరు. సొరంగం దారి. ఆరొందల మంది, అందులో సగం గాలి కోసం తలుపు దగ్గరే వేలాడతారు."

ఫోన్ పెట్టేశాక చీమకి కాలు నిలవలేదు. ముఠా ఎప్పుడు కొడుతుందో తెలియదు. సొరంగం ఒకటే, బావ ఒకడే.

మధ్యాహ్నం నీలం వచ్చింది. నీలం రంగు సిల్కు, ఎత్తు మడమల చెప్పులు, గది మొత్తానికి సరిపడా సెంటు. అసిస్టెంట్లిద్దరూ పదకొండు రోజుల్లో మొదటిసారి తలలెత్తారు. ఆవిడ పావుగంట కంప్యూటర్ దగ్గర కూర్చుని, లేచి, బకెట్టు పక్కగా నడిచింది.

"ఫినాయిల్ అయిపోయింది," అంది చీమ నేలకేసి చూస్తూ.

"నిమ్మ వాసనది తెప్పించండి." తర్వాత గుసగుసగా, "ఫైలు చూశాను. అసలుదే. ఇవాళ ఏమీ జరగదు. నువ్వు ఇంటికెళ్లు," అని గది దాటింది.

వెళ్లమన్నాక వెళ్లాలి. అది ఆర్డరు. చీమ తలుపుదాకా వెళ్లి వెనక్కి వచ్చింది. తుడిచిన మూలే మళ్లీ తుడిచింది. సబ్బు నీళ్లు పోసి మూడోసారి తుడిచింది. ఏదో తక్కువైంది. ఏమిటది? ఫ్యాన్ తిరుగుతోంది. కీబోర్డులు టకటకలాడుతున్నాయి. గడియారం నాలుగున్నర దాటింది. ఇంట్లో ఎప్పుడూ వినబడే కుళాయి చుక్కల చప్పుడు ఆగిపోతే నిద్ర పట్టదే, అలాంటి వెలితి.

గోడ వెనక లిఫ్టు మోటారు గుర్రుమంది. పైకి వచ్చింది, ఆగింది.

ఎవరూ "లిఫ్టు" అనలేదు.

చీమ దీపం వైపు చూసింది. పచ్చ. లిఫ్టు మళ్లీ దిగింది. పచ్చ. కన్నార్పకుండా, తడబడకుండా, నున్నగా పచ్చ. నీలం వచ్చిన దగ్గర్నుంచీ ఆ మాట ఈ గదిలో వినబడలేదు. దొంగ ఫైలు రాసినవాడికి అన్నీ తెలుసు, లిఫ్టు సంగతి తప్ప.

"బాబూ, రైలు ఆపండి!"

కంట్రోలర్ ఉలిక్కిపడ్డాడు. "ఏంటమ్మా?"

"నాలుగున్నర ప్యాసింజరు. ఆపండి. ఆ దీపం అబద్ధం చెబుతోంది."

"ప్యాసింజరు కదిలి నాలుగు నిమిషాలైంది. లైను ఖాళీ. పచ్చ కనబడ్డం లేదూ? నువ్వు నేల చూసుకో, తెర మేం చూసుకుంటాం."

గడియారం నాలుగూ ముప్ఫై నాలుగు. చెబుతూ కూర్చుంటే కాదు. చీమ బల్ల కిందికి దూరి, కంప్యూటర్ వెనకనుంచి నెట్‌వర్క్ కేబుల్ పట్టుకుని ఒక్క గుంజు గుంజింది. వైరు చేతికొచ్చింది.

"పిచ్చిదానా! ఏం చేశావ్!" కంట్రోలర్ కుర్చీ వెనక్కి పడింది.

"తిట్టడం తర్వాత. దీపం చూడండి."

ముగ్గురూ చూశారు. వైరు చీమ చేతిలో వేలాడుతోంది. దీపం పచ్చగానే ఉంది.

కంట్రోలర్ వైరు వైపూ దీపం వైపూ మార్చి మార్చి చూశాడు. "అయితే... అవతలి వైపు..."

"ఏముందో మీకు తెలియదు. నాకూ తెలియదు. ఆ ఎర్ర పిడేంటి?"

"సొరంగం లైను మొత్తానికి కరెంటు. దానికి వేరే వైరు."

"లాగండి!"

"కదలకండి," అంది నీలం. గుమ్మంలో నిలబడి ఉంది. వేళ్ల మధ్య లిప్‌స్టిక్, దాని కొసన సన్నటి సూది. గొడుగులవాడి మెడ మీద దోమకాటు చీమకి గుర్తొచ్చింది. "ఇంటికెళ్లమన్నాను కదా. చెప్పినమాట వినేవాళ్లే పెద్దాయనకి దొరకరు."

"పెద్దాయన నిన్ను నమ్మాడు."

"రెండు చోట్లా జీతం తీసుకునేవాళ్లని నమ్మడం ఆయన సరదా." నవ్వి, పిడికీ కంట్రోలర్‌కీ అడ్డంగా రెండడుగులు వేసింది.

రెండో అడుగు సరిగ్గా ఆ మూల పడింది. కాలు నిలవక చీమ మూడుసార్లు తుడిచిన మూల. ఎత్తు మడమ సర్రున జారింది. చీమ తుడుపు కర్రతో రెండో మడమ కూడా లాగేసింది. లిప్‌స్టిక్ ఎగిరి బకెట్టులో పడింది. అసిస్టెంట్లిద్దరూ నీలం చేతులు చెరొకటి పట్టుకున్నారు. కంట్రోలర్ ఎర్ర పిడికి రెండు చేతులా వేలాడాడు.

నాలుగూ ముప్ఫై ఆరు.

చీమ తలపిన్ను విరిచి గుచ్చింది, కేబుల్ తిరిగి పెట్టింది. దీపం ఒక్క క్షణం ఆరి, ఎర్రగా వెలిగింది. ముఠా అప్పటికే లైను కోసేసింది. ఫైలు అడుగుతోంది, జవాబు లేదు. అడుగుతోంది, జవాబు లేదు. గదిలో అందరూ నిలబడే ఉన్నారు.

పన్నెండు నిమిషాల తర్వాత ఇవతలి స్టేషన్ మాస్టరు ఫోన్ చేశాడు. లైను తెగి ప్యాసింజరు సంగతి అవతలికి అందక, అటునుంచి గూడ్సు సొరంగంలో దూరింది. ప్యాసింజరు ఇవతలనుంచి దూరింది. కరెంటు పోగానే డ్రైవర్లిద్దరూ బ్రేకు వేశారు. రెండు ఇంజిన్ల మధ్య నలభై అడుగుల దూరం ఉంది. ఎవరికీ దెబ్బ తగల్లేదు.

కంట్రోలర్ పడిన కుర్చీ ఎత్తుకోకుండానే నేల మీద కూర్చున్నాడు. చీమ పక్కన కూర్చుని మంచినీళ్లిచ్చింది. తనూ తాగింది.

మనుషులు వెళ్లి లైను అతికేసరికి ఏడైంది. దీపం పచ్చబడింది. అప్పుడే పెద్దాయన మనుషులు నీలానికి బేడీలు వేసి కిందికి తీసుకెళ్లారు. గోడ వెనక మోటారు గుర్రుమంది. పచ్చ తడబడి పసుపెక్కింది.

"లిఫ్టు," అన్నారు గదిలో అందరూ ఒక్కసారిగా.

ఫోన్ మోగింది. బావ.

"మరదలా, ఎవడో దద్దమ్మ సరిగ్గా సొరంగంలో కరెంటు తీసేశాడు. రెండున్నర గంటలు చీకట్లో చెమటలు కక్కాం. మీ ఇన్సూరెన్స్‌లో రైలు ఆగినందుకు పాలసీ ఏమైనా ఉందా?"

చీమ తుడుపు కర్ర పిండి గోడకానించింది.

"ఆగకపోతేనే వస్తుంది బావా. ఆగితే ఏమీ రాదు."

*

ఇట్లు,
అందరూ బొత్తాల పెద్దమ్మ అంటారు. డెబ్బై ఒకటో ఏడు. ఇప్పుడు చిన్నకూతురి టైలరింగ్ షాపు మీది గదిలో ఉంటున్నాను.