లోయ నేర్చుకున్న పేరు

ఆ బస్సులో ఎవరికీ సొంత పేరు లేదు.

ఎక్కేటప్పుడే తీసేసుకున్నారు. దిల్‌సుఖ్‌నగర్‌లో పొద్దున్నే బస్సు మెట్టు మీద నిలబడ్డ గైడు, మృదుల టికెట్టు చూసి, చాలా సీరియస్‌గా అన్నాడు:

"మేడం, ఈ టూర్ అయిందాక మీ పేరు కొత్తపేట."

"నా పేరు మృ..."

"ష్! చెప్పకుర్రి. కొత్తపేట అంటే పలకుర్రి. గంతే."

మృదుల కోచింగ్ సెంటర్లో ఫిజిక్స్ చెబుతుంది. వెనక బెంచీలో గుసగుసలాడేవాళ్ళను ఒక్క చూపుతో కూర్చోబెట్టగలదు. ఆ చూపు అతని మీద ప్రయోగించింది. అతను నవ్వాడు. చూపు దండగైపోయింది.

వాళ్ళ నాన్న రామమోహనరావుకు మలక్‌పేట వచ్చింది. "నేను బ్యాంకు మేనేజరుగా రిటైరైన మనిషినయ్యా. గుర్రప్పందాల పేట ఇస్తావా? బంజారాహిల్స్ లేదూ?"

"మన రూటు గాదు సార్."

అమ్మ సీతామహాలక్ష్మి మాత్రం చైతన్యపురిని సంతోషంగా పుచ్చుకుంది. సంతకం పెట్టడానికి తన పేరుకంటే అదే సులువుట. డ్రైవరు జానయ్య పేరు డిపో. గైడు తన పేరు ఎల్బీనగర్ అన్నాడు.

"దిల్‌సుఖ్‌నగర్ ఎవరికీ ఇవ్వలేదేం?" అంది మృదుల.

"అది మీ ఇల్లు గద మేడం. ఇంటి పేరు ఆడ చెప్పొద్దు."

"ఎక్కడ?"

"గండికోట కాడ. లోయ అంచుకు పోయినంక ఎవర్నీ పేరు పెట్టి పిలువద్దు. అది ఇంటది. ఇని నేర్చుకుంటది. తర్వాత అదే పిలుస్తది. మా జానయ్య మామ పెట్టిన రూలు."

"దాన్ని ఎకో అంటారు."

"ఎకో అయితే అప్పటికప్పుడు రావాలె గద మేడం," అన్నాడతను, సందేహం తీర్చుకునే మంచి విద్యార్థిలాగా. "ఇది తెల్లారి ఒస్తది."

ఆ మాట విన్నాక మృదుల కిటికీ అద్దం మూసుకుంది. చలికే.

ఎల్బీనగర్ చౌరస్తాలో బస్సు ఆగింది. అవి తెలంగాణ కోసం సహాయ నిరాకరణ సాగుతున్న రోజులు. రోడ్డుకు అడ్డంగా గులాబీ జెండాలతో విద్యార్థులు కూర్చున్నారు. ఇద్దరు బస్సు ఎక్కగానే రామమోహనరావు పేపరు ఎత్తి మొహానికి అడ్డం పెట్టుకున్నాడు. "నోరు విప్పకు, యాస పట్టేస్తారు" అని భార్యతో గుసగుసలాడాడు, ఆ యాసలోనే.

"ఎవర్రా వీళ్ళంతా? ఆంధ్రోళ్ళా?"

గైడు తొణకలేదు. ఒక్కొక్కరినీ చూపించాడు. "గీ సార్ మలక్‌పేట. గా అమ్మ చైతన్యపురి. మేడం కొత్తపేట. మనోళ్ళే అన్నా."

వాళ్ళు దిగిపోయారు. బస్సు ఆరాంఘర్ దాటేదాకా పేపరు దిగలేదు. అది తిరగేసి ఉందని మృదుల చూసింది కానీ చెప్పలేదు. ఆయన చదవడం లేదు. 'మనోళ్ళే' అన్న మాటను నాలుక మీద పెట్టుకుని, తీపో చేదో తేల్చుకుంటున్నట్టున్నాడు.

తేల్చుకోవడానికి టైము లేదు మరి. ఊరికి తిరిగి వెళ్ళగానే ఫ్లాటు అమ్మకానికి అడ్వాన్సు తీసుకోవాలి. గుంటూరులో అద్దె ఇల్లు చూసి పెట్టారు. మృదుల ఉద్యోగం మానేయాలి. పుట్టి పెరిగిన ఊరు మానేయాలి. చివరిసారిగా సరదాగా తిరిగొద్దామని వేసిన టూరు ఇది. సరదా ఒక్కటే సామాన్లలో సర్దుకోవడం మర్చిపోయారు.

"తెలంగాణ వస్తే మమ్మల్ని పొమ్మంటారుగా?" కర్నూలు దగ్గర టీ తాగుతూ రామమోహనరావు గైడును సూటిగా అడిగేశాడు.

"మేం అడిగేది రాష్ట్రం సార్. మీ ఫ్లాట్ గాదు."

మృదుల టీ పొలమారింది. గైడు మంచినీళ్ళ సీసా అందించి, "జర మెల్లగ, కొత్తపేటా," అన్నాడు. 'మేడం' అన్న పిలుపు ఎక్కడో కర్నూలుకు ముందే దిగిపోయింది.

* * *

గండికోట చేరేసరికి పొద్దు వాలింది. మర్నాడు మిట్టమధ్యాహ్నం లోయ అంచుకు వెళ్ళారు.

ఎండకు ఎవరికీ నీడ లేదు. ఎర్రటి రాతి పలకలు ఒకదాని మీద ఒకటి, ఎవరో పేర్చి, సగంలో భయపడి పారిపోయినట్టున్నాయి. కిందెక్కడో పెన్న, జడలోంచి జారిపోయిన పచ్చ రిబ్బనులా. గాలి లేదు. పిట్ట లేదు. అంతమంది సిటీవాళ్ళు ఉన్నా ఎవరూ మాట్లాడటం లేదు. ఆ నిశ్శబ్దం ఉత్తది కాదు, చెవి ఒగ్గి కూర్చున్నట్టుంది.

మృదుల ఒక్క అడుగు ముందుకు వేసి తొంగి చూసింది.

"మృదులా! వెనక్కి రా!"

రామమోహనరావుకు రూలు గుర్తే. కానీ కూతురు అంచున ఉంటే ఏ తండ్రికి బస్‌స్టాపు పేరు నోటికి వస్తుంది?

'మృదులా... వెనక్కి రా...' అంది లోయ.

"చూశారా? ఎకో. అవతలి గోడకు తగిలి వచ్చింది," అంది మృదుల. అందరూ తేలిగ్గా నవ్వారు. కోటలో ధాన్యాగారం వైపు తిరిగారు.

అప్పుడు మళ్ళీ వచ్చింది. ఈసారి నాన్న గొంతు కాదు. చిన్నగా, ఎవరో పలక మీద కొత్త అక్షరాలు దిద్దుకుంటున్నట్టు.

'మృ... దు... లా.'

ఫిజిక్సు పుస్తకంలో దీనికి పాఠం లేదు.

గైడు మొహం పాలిపోయింది. "పలికిండ్రా?"

"లేదు."

"పలకకుర్రి."

"మూడోసారి పిలిస్తేనే పలకాలి," సీతామహాలక్ష్మి కూతురి చెయ్యి గట్టిగా పట్టుకుంది. "మా అమ్మమ్మ చెప్పేది. మనిషైతే మూడోసారి కూడా పిలుస్తాడు. అవి రెండుసార్లే పిలుస్తాయి."

"చైతన్యపురమ్మా, మీరు మా మామ కన్న డేంజర్ ఉన్నరు," అన్నాడు గైడు. నవ్వబోయాడు కానీ సగమే వచ్చింది.

* * *

ఆ సాయంత్రం అందరూ గెస్ట్‌హౌస్ దగ్గర టీ కోసం చేరారు. మృదుల ఒక్కతే వెనక పిట్టగోడ దగ్గర నిలబడింది. ఆకాశం రాళ్ళ రంగులోకి, రాళ్ళు ఆకాశం రంగులోకి మారుతున్నాయి.

'మృదులా.'

ఈసారి గుర్తుపట్టింది. గైడు గొంతు. దగ్గరగా, మెత్తగా, అడగాలా వద్దా అని తటపటాయిస్తున్నట్టు. అబ్బో, అనుకుంది. కొత్తపేట కాదన్నమాట. పేరు తెలుసన్నమాట. మొహం వేడెక్కింది. గొంతు వచ్చిన వైపు నడిచింది.

'మృదులా.'

ఇంకాస్త ముందు నుంచి. రాతిపలకలు దాటింది. వస్తున్నా అనబోయింది. మూడోసారి పిలిస్తే అందామని, బెట్టు కోసం, ఆగింది.

మూడో పిలుపు రాలేదు.

"కొత్తపేటా!" వెనక నుంచి, చాలా వెనక నుంచి అరుపు. "కొత్తపేటా, ఆగు! కొత్తపేటా!"

ఆమె కిందికి చూసుకుంది. బొటనవేలి ముందు రాయి లేదు. చెప్పు కింద నుంచి ఒక గులకరాయి జారి పడింది. అది అడుగు తాకిన చప్పుడు కోసం చాలాసేపు విన్నది. రాలేదు.

గైడు పరుగెత్తుకొచ్చి చెయ్యి పట్టి వెనక్కి లాగాడు. రెండో చేతిలో ఇంకా టీ ఫ్లాస్కు ఉంది.

"దిమాక్ ఉన్నదా? ఎటు పోతున్నవ్?"

"మీరే కదా పిలిచారు!"

"నేనా? నేను చాయ్ పోస్తున్న!"

"మీ గొంతే. రెండుసార్లు. నా పేరు పెట్టి."

అతను ఆమె చెయ్యి వదిలేశాడు. లోయ వైపు చూశాడు. తర్వాత ఆమె వైపు చూడకుండా చాలా ఇబ్బందిగా అన్నాడు:

"రెండుసార్లేనా?"

"రెండుసార్లే."

"అయితే నాదే."

"అంటే?"

"నిన్న దిగంగనే... ఒక్కణ్ణే అంచుకు పోయిన. మెల్లగ అని చూసిన. పేరు నోట్ల ఎట్లుంటదో అని. ఎవరు ఇంటర్లే అనుకున్న." ఫ్లాస్కు మూత తిప్పాడు, బిగించాడు, మళ్ళీ తిప్పాడు. "మొదటిసారి ఊకెనే అన్న. రెండోసారి మనసుతోని అన్న. మూడోసారి అననీకి ధైర్యం రాలె."

"రూలు పెట్టింది మీరే, తప్పింది మీరే!"

"రూలు మా మామది," అన్నాడు నీరసంగా.

మృదుల అంచు నుంచి మరో రెండడుగులు వెనక్కి వేసింది. భయమో మరొకటో విడదీసి చూడటానికి అది సమయం కాదు. "నా పేరు మీకెలా తెలుసు? మెట్టు మీద చెప్పనివ్వలేదుగా?"

"టికెట్ బుకింగ్ కాడ కిటికీ సీటు కోసం మా మామతోని కొట్లాడినవ్ గద. వెనక నేనే ఉన్న. ఆయన గంట దాక పరేషాన్. నేను ఇంక పరేషాన్లనే ఉన్న."

ఆమె నవ్వింది. నవ్వు లోయలోకి దిగి, తిరిగి రాలేదు. దాచుకుందేమో.

"మీ పేరేమిటి?"

అతను తల అడ్డంగా ఊపాడు. "ఈడ గాదు. ఊళ్ళె చెప్తా."

"ఊళ్ళో నేను ఉంటేగా. గుంటూరు పోతున్నాం."

అతను ఫ్లాస్కు మూత తీశాడు. టీ పోసి ఇచ్చాడు. చల్లారిపోయింది. తాగేసింది.

* * *

మర్నాడు తిరుగు దారిలో బేలం గుహలు. గండికోట చాలా దూరంలో ఉండిపోయిందని అందరూ ఊపిరి పీల్చుకున్నారు. నేల కింద మెలికలు తిరిగిన దారి, చెమట, పసుపు దీపాలు. పాతాళగంగ దగ్గరికి వచ్చేసరికి కరెంటు పోయింది.

అలాంటి చీకటిని మృదుల ఎప్పుడూ చూడలేదు. కళ్ళు మూసినా తెరిచినా ఒకటే. ఎక్కడో నీటిచుక్క పడుతోంది.

'మృదులా,' అంది చీకటి, ముందున్న బొరియలోంచి. కాసేపు ఆగి, మనసుతో, 'మృదులా.'

"ఏవయ్యా ఎల్బీనగర్!" రామమోహనరావు చీకట్లోనే మండిపడ్డాడు. "చీకటి చూసుకుని మా అమ్మాయిని పేరు పెట్టి పిలుస్తావా?"

"నేను గాదు సార్." జవాబు ఆయన చెవి పక్క నుంచే వచ్చింది. "నేను ఈడున్న. మీరు జారుతరని మీ మోచెయ్యి పట్టుకొని ఉన్న."

నీటిచుక్క పడింది. సీతామహాలక్ష్మి ఆంజనేయ దండకం ఎత్తుకుంది, మధ్యలోంచి.

దీపాలు వచ్చాక రామమోహనరావు తన మోచెయ్యి చూసుకున్నాడు. గైడు ఇంకా పట్టుకునే ఉన్నాడు.

బస్సెక్కాక అతన్ని పక్కన కూర్చోబెట్టుకున్నాడు. వెనక సీట్లో మృదుల నిద్ర నటించింది.

"అది నీ గొంతే."

"అవును సార్."

"నీ గొంతు అక్కడెందుకుంది?"

కాదని అబద్ధం ఆడొచ్చు. ఆడలేదు. "లోయ కాడ నేనే జారవిడుచుకున్న సార్."

"రెండుసార్లు పిలిచావు. మూడోసారి ఏమయింది?"

"అప్పుడు ధైర్యం రాలె సార్. ఇప్పుడేమో మీరు గుంటూరు పోతున్నరు. పిలిచి ఏం లాభం?"

రామమోహనరావు పేపరు తీశాడు. ఈసారి సరిగ్గానే పట్టుకున్నాడు. కానీ చాలాసేపు పేజీ తిప్పలేదు.

* * *

ఊరు చేరేసరికి పొద్దు వాలుతోంది. సిటీలో ఆ రోజు బంద్. బస్సును ఎల్బీనగర్ దగ్గరే ఆపేశారు. మృదులావాళ్ళు ముగ్గురూ ఇంటికి నడక మొదలుపెట్టారు. పెద్ద సూట్‌కేసు మోస్తూ గైడు వెంట వచ్చాడు.

ఆ రోడ్డును అలా ఎవరూ చూసి ఉండరు. బస్సు లేదు, ఆటో లేదు, హారన్ లేదు. రెండు వైపులా షట్టర్లు, ఎర్రటి సంధ్యలో రాతి గోడల్లా. మధ్యలో నలుగురి అడుగుల చప్పుడు, వెనక దాని తోక. మృదుల చున్నీ దగ్గరికి లాక్కుంది. లోయ వాళ్ళ కంటే ముందే ఇక్కడికి వచ్చి కూర్చున్నట్టుంది.

రామమోహనరావు జేబులో ఫోను మోగింది. ఫ్లాటు కొనేవాడు. తీయలేదు. మోగీ మోగీ ఆగింది.

కొత్తపేట బస్‌స్టాపు వచ్చింది. గైడు సూట్‌కేసు దింపాడు.

"మీ స్టాప్ ఒచ్చింది మేడం. టూర్ అయిపోయింది. ఇగ మీ పేరు మీరు వాపస్ తీస్కోండ్రి." గొంతు సవరించుకున్నాడు. "నా పేరు సాయినాథ్."

అంతే. నిలబడ్డాడు. మృదుల నిలబడింది. ఆమెకు ఇన్ని రోజుల్లో మొదటిసారి నిజంగా భయం వేసింది. లోయలాగే ఇతనూ రెండింటితో ఆగిపోతాడేమోనని.

"ఏవయ్యా," అన్నాడు రామమోహనరావు, ఎదురుగా మూసిన స్వీట్ షాపు బోర్డు చదువుతూ. "రెండుసార్లు పిలిచి ఊరుకుంటే మా ఇంట్లో ఎవరూ పలకరు. మా ఆవిడ రూలు అది."

సాయినాథ్‌కు అర్థం కావడానికి కొంచెం టైము పట్టింది. ఎం.ఏ. చదివినవాడు, పాపం.

"మృదులా," అన్నాడు.

పిలుపు షట్టర్లకు తగిలి, రోడ్డు పొడవునా పోయింది. ఆమె అది పూర్తిగా పోయేదాకా ఆగింది.

"ఉన్నాను," అంది. "ఎక్కడికీ పోవడం లేదు."

సీతామహాలక్ష్మి కళ్ళొత్తుకుంది. ఫోను మళ్ళీ మోగింది. రామమోహనరావు ఈసారి ఎత్తి, హుందాగా అన్నాడు:

"హలో, మలక్‌పేట మాట్లాడుతున్నాను. కాదండీ, రాంగ్ నంబరు కాదు. ఫ్లాటు అమ్మడం లేదని చెప్పడానికి..."

సరిగ్గా అప్పుడే, వెనక, ఎల్బీనగర్ వైపు ఖాళీ రోడ్డు మీంచి, చాలా మెత్తగా, మృదుల గొంతుతో వచ్చింది.

'ఉన్నాను.'

నలుగురూ విన్నారు.

"ఎవరూ వెనక్కి తిరక్కండి," అంది సీతామహాలక్ష్మి, అల్లుడి చేతికి సూట్‌కేసు అందిస్తూ. "అన్నం టైమయింది. నడవండి."