పై వాటాలో ఏడుపు

మా పిన్ని వాళ్ల పై వాటాలో అద్దెకొచ్చినవాళ్లు ఎవరూ నిలవరని వీధి వీధంతా చెప్పుకునేది. చీకటి పడితే అక్కడ పసిబిడ్డ ఏడుస్తుందట. నేను దెయ్యాల్ని నమ్మను. మా పిన్ని చెప్పేవాటిలో సగం అసలే నమ్మను. ఇది మాత్రం ఆవిడ గొంతు బాగా తగ్గించి చెప్పింది.

అప్పుడు పిన్నికి నెలలు నిండాయి. బాబాయి అద్దాల కొట్లో పనిచేసేవాడు — కిటికీలకి గాజు కోసి బిగించడం. వసపిట్టలా వాగే మనిషి, ఉన్నట్టుండి బెల్లం కొట్టిన రాయిలా అయిపోయాడు. బిడ్డ కదులుతోంది, పొట్ట మీద చెయ్యి వెయ్యమంటే చెయ్యి వెనక్కి లాక్కునేవాడు. అన్నం తినగానే మాయం. ఎక్కడికంటే — "ఊరికే, గాలికి."

గాలికి తిరిగొచ్చినవాడి చొక్కాకి పాల వాసనేమిటి?

పిన్నికి అన్నం సహించకుండా పోయింది. ఇంకెక్కడో ఇంకో సంసారం ఉందేమో... ఈ బిడ్డ పుట్టకముందే తనని వదిలేస్తాడేమో...

ఓ రాత్రి కరెంటు పోయింది. బాబాయి ఇంట్లో లేడు. పైన ఏడుపు మొదలైంది. సన్నగా... ఆగి ఆగి. కాసేపటికి ఆ ఏడుపు సద్దుమణిగింది. దాని వెంటే ఓ మగగొంతు — "ఊరుకో తల్లీ... ఊరుకో..."

బాబాయి గొంతు.

భయం కన్నా కోపం ముందొచ్చింది పిన్నికి. దెయ్యమైతే దెయ్యం, సవతైతే సవతి, ఇవాళ తేలిపోవాలనుకుంది. గోడ తడుముకుంటూ, ఆయాసపడుతూ మెట్లెక్కింది. తలుపు ఓరగా వేసి ఉంది. తోసింది —

ఖాళీ గది. అదే పాల వాసన. కిటికీ దగ్గర వెన్నెల్లో బాబాయి ఒక్కడే మఠం వేసుకుని, దుప్పటి మూటొకటి ఒళ్లో పెట్టుకుని ఊపుతున్నాడు.

"ఏంటిది?"

దొంగ దొరికినట్టు తలొంచుకున్నాడు. "నా చేతులకి గాజు పట్టుకోవడమే వచ్చు. గాజు జారితే ఇంకోటి కోస్తాం. బిడ్డ జారితే...? అది పుట్టాక మన బతుకు ఎలా మారుతుందో ఏమో. భయంగా ఉందే. అందుకే నేర్చుకుంటున్నా."

పిన్నికి గుండెల మీంచి బరువు దిగింది. నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. అక్కడే చతికిలబడింది.

"సరిపోయింది. మీ మూలాన వీధిలో వాళ్లంతా జడుసుకు చస్తున్నారు. ఊపితే ఊపారు... మధ్యలో ఆ ఏడుపెందుకు? అచ్చం పసిపిల్లలాగే ఏడ్చారు."

బాబాయి ఊపడం ఆపలేదు.

"నేను ఏడవలేదే," అన్నాడు మెల్లిగా. "అది ఏడుస్తుంటేనే కదా నేను పైకొచ్చేది. గట్టిగా మాట్లాడకు... ఇప్పుడే పడుకుంది."