అరంగుళం అంచు

బైండింగు పూర్తయిన పుస్తకాన్ని సమీర్ చేతిలో పెట్టి, మెచ్చుకోలు కోసం గుల్నాజ్ కౌంటరు మీద మోచేతులాన్చి నిలబడింది. ముదురాకుపచ్చ అట్ట, వెన్ను మీద బంగారు రంగు అక్షరాలు, మూడు వైపులా చెయ్యి జారిపోయేంత నున్నటి అంచులు. ఆ పనికి తనకు తానే ఫస్ట్ క్లాసు వేసుకుని ఉంది పాపం.

సమీర్ పుస్తకం తెరిచాడు. రెండు పేజీలు తిప్పాడు. గబగబా మధ్యలోకి వెళ్లాడు, చివరికి వెళ్లాడు, మళ్లీ మొదటికి వచ్చాడు. తలెత్తేసరికి అతని ముఖంలో నెత్తురు చుక్క లేదు.

"అంచులు కోసినారా?"

"కోయకుండా బైండింగు ఎట్లయితాది సార్?" గుల్నాజ్ ఇంకా నవ్వుతూనే ఉంది.

"పక్కన పెన్నుతో రాసిండేది గదా..."

ఆమె నవ్వు అక్కడే ఆగిపోయింది. పుస్తకం లాక్కుని చూసింది. ప్రతి పేజీ అంచునా నీలం సిరాతో తెలుగు రాత. కుడి పేజీల్లో వాక్యాలకు తోకలు లేవు, ఎడమ పేజీల్లో తలలు లేవు. మిగతావి ఏమయ్యాయో కటింగు మిషను కత్తికే తెలియాలి.

తిరుపతి కొర్లగుంటలో సుభాన్ బాషా బైండింగు దుకాణం తెలియని విద్యార్థి ఉండడు. ఆయన భుజం నొప్పితో కటింగు మిషను చక్రం తిప్పలేకపోతున్నప్పటి నుంచీ, బీకాం అయిన కూతురు గుల్నాజే దుకాణం నడుపుతోంది. సమీర్‌ది నాయుడుపేట. ఇక్కడ డిగ్రీ కాలేజీలో గెస్టు లెక్చరరు. చెప్పేది డెవలప్‌మెంట్ ఎకనామిక్సు. దేశాలు ఎందుకు పేదవయ్యాయి, ఎలా ఎదుగుతాయి అన్న పుస్తకాలు ఒకటి తర్వాత ఒకటి తెచ్చి, కుట్లు ఊడిపోయాయని దుకాణంలో ఇచ్చేవాడు. సుభాన్ బాషా వాటిని కూతురి ముందుకు తోసేవాడు.

ఎకనామిక్సు పుస్తకాలకు ఏం జబ్బు సార్, అన్నిటికీ వెన్నెముకే పోతుంది అని ఆమె ఏడిపించేది. అభివృద్ధి బరువు మామూలుది కాదండీ అని అతను బదులిచ్చేవాడు. కుట్టేటప్పుడు గుల్నాజ్ నాలుగు పేజీలు చదివేది. వృద్ధి రేటు కంటే ఆ పేజీల్లో అతను పెట్టిన పెన్సిలు గీతల మీదే ఆమె ధ్యాస ఎక్కువ. అతని బండి చప్పుడు సందు మలుపులోనే గుర్తుపట్టేది. అది ఏ జబ్బో మాత్రం తనను తాను అడగలేదు.

ఈ పుస్తకం సమీర్‌ది కాదు. అతని గురువు జయరావు సారుది. సారు సర్వీసంతా ఆ ఒక్క ఇంగ్లీషు పుస్తకంతోనే పాఠం చెప్పాడు. ఇంగ్లీషు పుస్తకం అర్థం కాదు, తెలుగులోకి మార్చినవి అంతకంటే అర్థం కావు అని తెలుగు మీడియం పిల్లలు ప్రతి ఏడాదీ మొత్తుకుంటుంటే, ఒక్కో సంగతికీ ఒక్కో ఊరి ఉదాహరణ పేజీ అంచున రాసుకుంటూ వచ్చాడు. రిటైరయ్యాక, ఆ రాతలన్నీ కలిపి మంచి తెలుగు పుస్తకం తయారు చేయమని సమీర్‌కు అప్పగించాడు. వేరే ప్రతి లేదు.

కోసేటప్పుడు గుల్నాజ్ ఆ రాతను చూసింది, చదవలేదు. సెకండ్‌హ్యాండు పుస్తకాల అంచుల్లో ఏముంటాయి? బాణం గుచ్చుకున్న గుండెలు, హీరోలకు గీసిన మీసాలు. అవి పోతే జనం సంతోషిస్తారు. అయినా రాత కనిపిస్తే అడగనిదే కత్తి దించవద్దన్నది నాన్న నేర్పిన మొదటి పాఠం. అడిగితే సమీర్ ఫోనులోనే సరే అనేస్తాడు, చూసినప్పుడు ఆశ్చర్యపోడు. అందుకని అడగలేదు.

"కోసిన ముక్కలు యాడున్నాయి?" అన్నాడు సమీర్.

అప్పుడు గుర్తొచ్చింది. కోసిన కాగితపు పేలికల బస్తా పొద్దున్నే ప్రేమానందం తీసుకుపోయాడు. అలిపిరి దగ్గర అతనికి గాజు దీపాల అంగడి. కొండకు వచ్చిన వాళ్లు కొన్న దీపాలు పగలకుండా, డబ్బాల్లో ఆ పేలికలే కూరి కడతాడు.

ఆమె స్కూటీ ముందు, అతని బండి వెనక. కపిలతీర్థం దాటేసరికి వాన అందుకుంది. ఆగుదామని ఇద్దరిలో ఎవరూ అనలేదు.

ప్రేమానందం సంగతి విని తల గోక్కున్నాడు. పొద్దుటి నుంచి వ్యాపారం బాగుంది. జయరావు సారు జీవితకాలపు మాటలు దీపాల చుట్టూ చుట్టుకుని బస్సులెక్కి, రైళ్లెక్కి ఎవరి ఊళ్లకు వాళ్లతో వెళ్లిపోయాయి. బస్తా అడుగున గుప్పెడు పేలికలు మిగిలాయి.

అంగడి మెట్ల మీద, రేకు కింద ఒదిగి కూర్చుని ఇద్దరూ ఒక్కో పేలికా పేజీలకు ఆనించి చూశారు. తడిసిన జడ నుంచి నీళ్లు పుస్తకం మీద పడకుండా గుల్నాజ్ తల వెనక్కి వంచుకుని కూర్చుంది. చాలాసేపటికి ఒక పేలిక ఒక పేజీకి సరిగ్గా అతుక్కుంది. వాక్యం పూర్తయింది. సమీర్ పైకి చదివాడు.

"మా మేనమామ చేలో నలుగురు చాలిన పనికి ఆరుగురు దిగుతారు. ఇద్దరు వెళ్లిపోయినా శెనక్కాయల దిగుబడి తగ్గదంటుంది పుస్తకం. ఏ ఇద్దరు?"

ఏ ఇద్దరు అని గుల్నాజ్ కూడా అడిగింది. అదే గదా సారు క్లాసులో అడిగేది అన్నాడు సమీర్. పైకి పనిలో ఉన్నట్టే కనిపిస్తూ నిజానికి పని లేని మనుషుల గురించి పుస్తకం రెండు పేజీలు రాస్తే, సారు ఒక్క ప్రశ్నతో క్లాసంతా లేచి నిలబడేలా చేసేవాడట. పెద్దకొడుకు వెళ్లాలా, మేనకోడలు వెళ్లాలా అని పిల్లలు కొట్లాడుకునేవాళ్లట. మిగిలిన పేజీల దొంతర వైపు చూసి, ఇద్దరూ ఆ గుప్పెడు పేలికలూ ఏరి పుస్తకంలో పెట్టుకున్నారు.

ఆ సాయంత్రం దుకాణంలో కూర్చుని గుల్నాజ్ ఒక నిర్ణయానికొచ్చింది. పుస్తకం మళ్లీ విప్పి, పేజీకీ పేజీకీ మధ్య తెల్లకాగితం చేర్చి కుడితే, గుర్తున్నంత వరకు సారు తిరిగి రాసుకోవచ్చు. ఎంత మందం దారం వాడాలో చూద్దామని, మొదట విప్పినప్పుడు తీసి రేకు డబ్బాలో వేసిన పాత దారం బయటికి తీసింది. లైటు కింద పట్టుకుని చూసింది. చూసి అలాగే కొయ్యబారిపోయింది.

మరునాడు సమీర్ రాగానే ఆ దారాన్ని కౌంటరు మీద పెట్టింది.

"నలిగి తెగిన దారానికి కొసన పీచు లేస్తాది సార్. దీనికి లేదు. బ్లేడు పెట్టింది ఎవురు?"

సమీర్ దారం వైపు చూశాడు. వీధి వైపు చూశాడు. ఎదురుగా టీ కొట్టు బోర్డు మొత్తం చదివాడు.

"నేనే."

"సారు పుస్తకాన్నా? ఎందుకు?"

"నావన్నీ అయిపోయినాయి." అతను తల వంచుకున్నాడు. "ఉన్న పుస్తకాలన్నీ తెంపి మీ దెగ్గరికి తెచ్చేసినాను. ఇంకోటి దొరికేదాకా ఆగలేకపోయినాను."

గుల్నాజ్‌కు గుండె ఒక్కసారి ఎగిరింది, అంతలోనే ఒళ్లు మండింది. రెండూ ఒకేసారి ఎలా జరుగుతాయో ఆమెకే అర్థం కాలేదు. ఇన్నాళ్లూ తను సూది గుచ్చుకుంటూ కుట్టిన పుస్తకాలన్నీ నిక్షేపంగా ఉన్నవే. అతనికి తను కావాలి, ఆ మాట చెప్పడానికి నోరు లేదు, చేతిలో బ్లేడు మాత్రం ఉంది. ఆ చేతగానితనానికి ఒక పెద్దాయన జీవితం పేలికలై పోయింది.

"ఒక్క మాట నోటితో అనుంటే ఆ పుస్తకం మిగిలేది" అని లోపలికి వెళ్లిపోయింది.

లోపల సుభాన్ బాషా అన్నీ విన్నాడు. తప్పు దుకాణంలో జరిగింది కాబట్టి దుకాణం పెద్ద వెళ్లి నిలబడాలని, ముగ్గురూ కలిసే సారు ఉండే చిత్తూరు పోదామని అన్నాడు. బస్సులో గుల్నాజ్ తండ్రి పక్కన కిటికీ దగ్గర కూర్చుంది. సమీర్ ముందు సీట్లో, పుస్తకం ఒళ్లో పెట్టుకుని. పాకాల దాటేదాకా సుభాన్ బాషా కళ్లు మూసుకునే ఉన్నాడు. సారు తనను క్షమించకపోయినా ఫర్వాలేదు, ఆయన ఆ పుస్తకం ముట్టుకునేటప్పుడు మాత్రం తను చూడకుండా ఉంటే బాగుండునని గుల్నాజ్ కోరుకుంది.

చూడక తప్పలేదు. చిత్తూరు గిరింపేటలో తన ఇంటి వసారాలో కుర్చీలో కూర్చుని జయరావు సారు బొటనవేలితో ఆ నున్నటి అంచు తడిమాడు. ఒక పేజీ తెరిచి చాలాసేపు చూశాడు. కాఫీ గ్లాసులతో వచ్చిన ఆయన భార్య గంగులమ్మ గడపలోనే ఆగిపోయింది.

"నా సర్వీసంతా ఈ అంచుల్లోనే ఉండాది" అన్నాడాయన. కోపంగా అనలేదు. అదే ఎక్కువ బాధగా ఉంది.

గుల్నాజ్ లేచి నిలబడింది. "కోసింది నేను సార్. అడగకుండా కోసినాను." ఇక దాచి లాభం లేదనుకుని సమీర్ వైపు చెయ్యి చూపింది. "ఈయన సూసి బాగుందనల్లని, మామూలు కంటే అరంగుళం ఎక్కువ కోసినాను. అంచు అద్దం మాదిరి రావల్లని."

సమీర్ నోరు తెరిచి ఆమె వైపే చూస్తూ ఉండిపోయాడు. తర్వాత అతనూ లేచాడు.

"ఆమెది కాదు సార్ తప్పు. మీ పుస్తకం అసలు చినగలేదు. బ్లేడు పెట్టి నేనే కుట్లు తెంపినాను."

"నువ్వా?" సారు కళ్లజోడు తీసేశాడు. "నా పుస్తకాన్నా? దేనికప్పా?"

సమీర్ గుల్నాజ్ వైపు ఒకసారి చూసి తల దించుకున్నాడు. గంగులమ్మ గ్లాసులు కింద పెట్టి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"ఆ బిడ్డ మొగం సూడండి, దేనికో తెలుస్తాది" అంది భర్తతో.

సారు గుల్నాజ్ వైపు చూశాడు. సమీర్ వైపు చూశాడు. అంతవరకూ మాట్లాడని సుభాన్ బాషా అప్పుడు గొంతు సవరించుకున్నాడు.

"తప్పు నాది కూడా ఉండాది సార్."

అందరూ అటు తిరిగారు.

"ఈయప్ప తెచ్చిన మొదటి పుస్తకం నా చేతికే వచ్చింది. దారం సూస్తానే తెలిసింది, బ్లేడు పని అని. రెండోదీ అంతే. ఆ తర్వాతవన్నీ అంతే. పిల్లోడు నిమ్మళంగా ఉండాడు, పుస్తకాలైపోతే నోరు తెరుస్తాడులే అనుకుంటి. పక్కోళ్ల పుస్తకం మీద పడతాడని నాకేం తెలుసు సార్?"

గుల్నాజ్‌కు భూమి తిరిగినట్టయింది. దారం గురించి తను కనిపెట్టానని ఎంత పొంగిపోయింది. ప్రతి పుస్తకం ఈయనే స్వయంగా తన ముందుకు తోసి, ఇది నువ్వే చెయ్యమ్మా అన్నాడు కదా. బస్సులో పక్కనే కూర్చుని కళ్లు మూసుకున్నవాడు నిద్రే పోలేదన్నమాట.

మొదట గంగులమ్మ నవ్వింది. తర్వాత సారు నవ్వాడు, కళ్లలో నీళ్లు తుడుచుకుంటూనే. పోయింది పోయిందే, కొన్ని నాకే గుర్తులేవు అన్నాడు. ఒక తెగిన వాక్యం దగ్గర వేలు పెట్టి, "మా ఊళ్లో బోర్లు" అని చదివి ఆగాడు. అప్పుడేం రాశాడో తెలియడం లేదు. ఇప్పుడైతే ఇట్ల చెప్తాను అని మొదలుపెట్టి, ఒకడు వేస్తే నీళ్లు, అందరూ వేస్తే దుమ్ము పడే ఊరి కథ అరగంట చెప్పాడు. సమీర్ జేబులో పెన్ను వెతుక్కున్నాడు.

శిక్ష అక్కడే ఖరారైంది. ప్రతి ఆదివారం ఇద్దరూ రావాలి. తెగిన చోటల్లా సారు చెబుతాడు, గుల్నాజ్ చేర్చిన తెల్లకాగితాల మీద సమీర్ రాయాలి. తోడుగా సుభాన్ బాషా వస్తాడు. వచ్చి అరుగు మీద నిజంగానే నిద్రపోతాడు. మామిడికాయలు మండీకొచ్చే రోజులకు నాయుడుపేట నుంచి సమీర్ అమ్మానాన్నలు వచ్చి సంబంధం అడిగారు. అబ్బాయి తరఫు పెద్దగా జయరావు సారే కూర్చున్నాడు. అల్లుడి గదిలో బ్లేడు ఉండకూడదన్నది సుభాన్ బాషా పెట్టిన ఒకే ఒక షరతు.

తెలుగు పుస్తకం అచ్చయి, కుట్టాల్సిన పేజీల ఫారాలు కొర్లగుంట దుకాణానికే వచ్చాయి. మొదటి ప్రతి గుల్నాజ్ తన చేత్తో కుట్టింది. అంచులకు కత్తి తగలనివ్వలేదు. ఎగుడుదిగుడుగా, వెడల్పుగా అలాగే వదిలేసి కౌంటరు మీదుగా సమీర్ చేతిలో పెట్టింది.

సమీర్ పుస్తకం తెరిచాడు. ఆ పేజీ కోసం వెతికాడు. మేనమామ చేను, ఆరుగురు మనుషులు, శెనక్కాయలు అన్నీ అచ్చులో ఉన్నాయి. చివర సారు ప్రశ్న అలాగే ఉంది, ఏ ఇద్దరు అని. దాని పక్కన ఖాళీ అంచులో నీలం సిరాతో, తడి ఇంకా ఆరని అక్షరాలతో ఎవరో జవాబు రాశారు.

"మనిద్దరం."

తలెత్తేసరికి అతని ముఖం ఎర్రబడి ఉంది. గుల్నాజ్ అప్పటికే వెనక్కి తిరిగి, వేరే ఎవరిదో పుస్తకం కుడుతోంది.